తిరిగొచ్చిన ముల్లంగి

‘మళ్లీ ముల్లంగేనా!’

చియొరి పైకి అనలేదు గానీ, ప్రాణం ఉసూరుమంది.

వరదలో ఇళ్లు పోయినవాళ్లకి కట్టించిన రేకుల ఇళ్ల మధ్య ఉన్న చిన్న హాలది. అమ్మ కచేరీ అప్పుడే ముగిసింది. టోకుజి తాత జనంలోంచి దారి చేసుకుంటూ వచ్చాడు. చేతుల్లో చియొరి చెయ్యంత ముల్లంగి, ఆకులతో సహా. దానికి తాడుతో ఒక చీటీ కట్టి ఉంది. దాని మీద తాత పేరు, ఫోన్ నంబరు. ఆ ఊళ్లో కూరగాయకి పండించినవాళ్ల పేరు ఉండాల్సిందే.

“ఎంత బాగా పాడారమ్మా! ఇదుగో, ఇది తీసుకెళ్లండి.”

అమ్మ నడుం వంచి, రెండు చేతులా అందుకుంది. వెంటనే తెచ్చి చియొరికి అంటగట్టింది.

చియొరి అమ్మ పేరు కనాయే. పెద్ద ఒపేరా గాయని. ఇటలీ దాకా వెళ్లి పాడొచ్చింది. టోక్యోలో పాడితే గులాబీ గుత్తులిస్తారు. ఇక్కడ నెలనెలా వచ్చి డబ్బు తీసుకోకుండా పాడుతుంది. ఇక్కడివాళ్లు ముల్లంగి ఇస్తారు.

పోయిన నెల ఒక బామ్మ రెండిచ్చింది. వారమంతా ఇంట్లో ముల్లంగి పులుసు, ముల్లంగి తురుము, ముల్లంగి ఊరగాయ. చాలదన్నట్టు ముల్లంగులతో వస్తుంటే రైల్లో తన క్లాసు పిల్ల రెంకా చూసింది. మర్నాటి నుంచి క్లాసులో చియొరి పేరు ‘ముల్లంగి చియొరి’.

“బరువుగా ఉందమ్మా!”

అమ్మ తన గొంతు చూపించి, చెయ్యి అడ్డంగా ఊపింది. కచేరీ అయ్యాక ఆ రోజంతా అమ్మ మాట్లాడదు. గొంతుకి విశ్రాంతి. మాస్కు పెట్టుకుని అన్నీ సైగలే.

“నీతో పోట్లాడే వీలు కూడా లేదు!” అని చియొరి కాళ్లు నేలకేసి కొట్టింది.

ఆ ఊరి స్టేషన్లో అమ్మ చూడకుండా ముల్లంగిని బెంచీ కింద వదిలేసి రైలెక్కింది. హమ్మయ్య అనుకునేలోపు టోపీ చేత్తో పట్టుకుని స్టేషన్ మాస్టరు పరుగెత్తుకొచ్చాడు.

“పాపా! పాపా! మీ ముల్లంగి!”

పెట్టెలో ఉన్నవాళ్లంతా తిరిగి చూశారు. చియొరికి తల కొట్టేసినట్టయింది. వంగి థాంక్స్ చెప్పక తప్పలేదు.

రైలు మారేటప్పుడు దాన్ని సామాన్ల అరలోనే వదిలేసి దిగింది. మెట్లు ఎక్కుతుంటే వెనక నుంచి కాలేజీ కుర్రాడొకడు రొప్పుతూ వచ్చాడు.

“చెల్లీ, ఇది నీదే కదూ?”

పాపం, అతని రైలు వెళ్లిపోయింది.

‘ఈ దేశంలో ఒక ముల్లంగిని పారేసుకోవడం కూడా కుదరదా!’ చియొరికి చిర్రెత్తుకొచ్చింది.

తమ స్టేషన్లో దిగాక, అమ్మ ముందు నడుస్తుంటే, చేతులు కడుక్కునే చోట దాన్ని గోడకి ఆనించి, వెనక్కి చూడకుండా వచ్చేసింది. ఈసారి ఎవరూ వెంటపడలేదు.

ఇంటికొచ్చాక అమ్మ చేతులు తిప్పింది, ఏదీ అన్నట్టు.

“ఎక్కడో మర్చిపోయానమ్మా.”

అమ్మ మొహం చిట్లించింది. కానీ మాట్లాడకూడదే! బతికిపోయాననుకుంది చియొరి.

మర్నాడు మధ్యాహ్నం బెల్లు మోగింది. తలుపు తీస్తే టోకుజి తాత! చంకలో పేపరు చుట్టిన ముల్లంగి.

“స్టేషన్ వాళ్లు చీటీ చూసి నాకు ఫోన్ చేశారు. హాలు వాళ్లనడిగి మీ ఇల్లు కనుక్కున్నాను” అన్నాడు తాత. తర్వాత చియొరి ముందు నడుం వంచాడు. “తప్పు నాదే పాపా. చిన్నపిల్లవి, నీ చేతికి ఇంత బరువిచ్చాను. తాడైనా పట్టుకోడానికి వీలుగా కట్టలేదు.”

“అయ్యో, దీనికోసం ఇంత దూరం వచ్చారా టోకుజిగారూ! వచ్చే నెల ఇంకోటి ఇచ్చేవారుగా?” అంది అమ్మ.

“ఇంకోటి వేరమ్మా. వరదొచ్చాక ఒకరు బియ్యం ఇచ్చారు, ఒకరు దుప్పట్లు ఇచ్చారు, మీరు పాటిచ్చారు. తీసుకోవడం, వంగి థాంక్స్ చెప్పడం, ఇదే పనైపోయింది నాకు. నడుం పడిపోయిందనుకోండి! బురదంతా ఎత్తిపోశాక నా పొలంలో మొదట పీకింది ఇదే. నేనూ ఒకటిచ్చానని రాత్రి హాయిగా నిద్రపోయాను.”

ఎంత పాడుపని చేశాను అనుకుంది చియొరి.

“తాడు బాగానే ఉంది తాతా. నేనే వదిలేశాను. కావాలనే.”

“చియొరీ!”

ఒకరోజు విశ్రాంతి తీసుకున్న ఒపేరా గొంతు అది. కిటికీ అద్దాలు గలగలలాడాయి. పక్కింటి కుక్క మొరిగింది.

తాత మాత్రం ముల్లంగి వంక చూసి, మెల్లిగా అడిగాడు.

“అంత బాగాలేదా ఇది?”

ఆ మాటకి చియొరి కళ్లలో నీళ్లు తిరిగాయి. తల అడ్డంగా ఊపి, రెండు చేతులూ చాపింది.

“నాకివ్వు తాతా. ఇంకోసారి ఇవ్వు.”

ఆ రోజు తాత అక్కడే భోంచేశాడు. చియొరి ముల్లంగి పులుసు రెండోసారి వడ్డించుకుంది.

తర్వాతి నెల కచేరీ అయ్యాక తాత ఇంకా పెద్దది ఇచ్చాడు.

“పాపా, ఈసారి మర్చిపోవుగా?” అని స్టేషన్ మాస్టరు కన్నుగీటాడు. రైల్లో ఎదురు సీట్లో ఎవరు? రెంకా!

“మళ్లీ ముల్లంగేనా?” రెంకా కిసుక్కున నవ్వింది.

“ఆఁ, ముల్లంగే. సగం నీకూ ఇవ్వనా?”

చియొరి దాన్ని ఒళ్లో నిలబెట్టుకుంది. ఆకులు గడ్డానికి గుచ్చుకుంటున్నాయి. చీటీ వెనక్కి తిరిగి ఉంటే, తాత పేరు రెంకాకి కనబడేలా ముందుకి తిప్పింది.