గోల్డ్ రూమ్‌లో ఉచిత టికెట్

శవం చెవులకి హెడ్‌ఫోన్స్ ఇంకా అలాగే ఉన్నాయి. వాటిలోంచి తుపాకుల మోత వినిపిస్తూనే ఉంది.

ఇంటర్నెట్ సెంటర్, ఏడో నంబర్ కేబిన్. కుర్చీలో వెనక్కి వాలి, కునుకు తీస్తున్నవాడిలా ఉన్నాడు గొడుగు. మెడ మీద దోమ కుట్టినంత ఎర్రటి చుక్క. విషపు ఇంజెక్షన్. స్క్రీన్ మీద అతని సైనికుడు మాత్రం బంగారు కవచం, పులి మొహం మాస్కు, నెత్తిన మంటల కిరీటంతో పెళ్లికొడుకులా నిలబడి ఉన్నాడు.

గొడుగు అతని కోడ్ నేమ్. డిపార్ట్‌మెంట్‌లో ఏజెంట్లందరికీ ఇంట్లో వాడుకునే వస్తువుల పేర్లే. శత్రువు చెవిన పడ్డా ఏదో కొనాల్సిన సామాన్ల జాబితా అనుకుంటాడని చీఫ్ గారి తెలివి. ఆ చీఫ్‌ని అందరూ పెద్దాయన అంటారు. ఇక శవం పక్కన మోకాళ్ల మీద కూర్చుని వణుకుతున్న సన్నటి ఆడమనిషి కోడ్ నేమ్ సూది. ఆరేళ్లుగా గొడుగుతో కలిసి పనిచేసింది. ఏడుద్దామనుకుంది. భయం ఏడుపుని కూడా రానివ్వలేదు.

మర్నాడు పొద్దున్నే బ్రీఫింగ్. కిటికీలు లేని గది, రెండు కుర్చీలు, ఒక ప్రొజెక్టర్.

"గేమ్ పేరు జ్వాలా స్క్వాడ్," అన్నాడు పెద్దాయన. "ఆన్‌లైన్ షూటర్. డౌన్‌లోడ్ ఉచితం. తుపాకులు ఉచితం, మ్యాపులు ఉచితం."

"మరి వాళ్లకి మిగిలేదేంటి సార్?"

"సోకులు. బట్టలు, తుపాకీకి రంగులు, గెలిచాక వేసే డాన్సులు. డబ్బు పెట్టినవాడి తూటాకీ పెట్టనివాడి తూటాకీ దెబ్బ ఒకటే. అయితే డబ్బు పెడితేనే దొరికేవి రెండున్నాయి. ఒకటి గోల్డ్ రూమ్. పాస్ ఉన్న పదిమందికే అందులో ప్రవేశం. రెండు, బంగారు తూటా. మామూలు తూటా గుర్తు గోడ మీద రెప్పపాటులో మాయమవుతుంది. బంగారు తూటా గుర్తు మ్యాచ్ అయ్యేదాకా ఉంటుంది."

సూదికి విషయం తట్టింది. "గోడ మీద తూటాలతో రాస్తారు."

"కరెక్ట్. చాట్‌లో రాస్తే రికార్డవుతుంది. గోడ మీద రాస్తే మ్యాచ్ అవగానే తుడిచిపెట్టుకుపోతుంది. గోల్డ్ రూమ్ మ్యాప్‌లో సున్నం వేసిన గోడ ఒక్కటే ఉంది, బావి పక్కన. ఈ శనివారం కాదు, వచ్చే శనివారం మధ్యాహ్నం మూడింటికి దాని మీద ఒక పేరు రాసి విదేశీ ముఠాకి అమ్ముతారు. గొడుగు పంపిన ఆఖరి మెసేజ్ అది."

"ఎవరి పేరు?"

పెద్దాయన కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు. "మీ అక్క పేరమ్మా."

ఆ ముఠా ఆఫీసులో రెండేళ్లుగా టైపిస్టుగా పనిచేస్తూ రహస్యాలు చేరవేస్తున్నది ఆమె సొంత అక్క. భవనం మీద విదేశీ జెండా ఉంది కాబట్టి పోలీసులు గడప తొక్కడానికి వీల్లేదు. శనివారం కూడా డ్యూటీయే. ఫోన్లు గేటు దగ్గరే లాక్కుంటారు. సాయంత్రం అయిదింటి దాకా కబురు పంపే దారి లేదు.

"ముందే రప్పించేయండి సార్!"

"ఒక్కరోజు రాకపోయినా అనుమానం ఆమె మీదికే పోతుంది, పేరు అమ్మేవాడు మనకి చిక్కకుండా జారిపోతాడు. ఇల్లు కూడా వాళ్లిచ్చిందే, కాపలా వాళ్లదే. నువ్వు గోల్డ్ రూమ్‌లోకి వెళ్లాలి. పాస్ కొనడానికి కార్డ్ రెడీగా ఉంది."

సూది కార్డ్ ముట్టుకోలేదు. గొడుగు ఫైల్ తెరిచింది.

"సార్, ఈయన లెవెల్ రెండు. అంటే నిన్న మొదలుపెట్టిన పసికూన. ఒంటి మీద చూస్తే కంపెనీ అమ్మే ప్రతి సరుకూ ఉంది. ఆడేవాడెవడైనా ఇలా కొంటాడా? సర్కారు డబ్బుకి ఇండెంట్ పెట్టేవాడే ఇలా కొంటాడు."

పెద్దాయన దగ్గాడు. "కంప్లీట్ కిట్ అని శాంక్షన్ చేసింది నేనే."

"డబ్బు కట్టింది పదకొండూ పదికి. చనిపోయింది పదకొండూ యాభైకి. కార్డ్ గీకగానే పేరు, ఫోన్ నంబర్, ఎక్కడినుంచి కట్టాడో అన్నీ బిల్లింగ్‌కి తెలిసిపోతాయి. ఆ కంపెనీ బిల్లింగ్‌లో ఎవరున్నారు?"

"నెమలి ఉంది. మన మనిషి."

నెమలి డబుల్ ఏజెంట్. ముఠా దగ్గరా జీతం, వీళ్ల దగ్గరా జీతం. వస్తువుల పేర్లు నచ్చక తన కోడ్ నేమ్ తనే పెట్టుకున్న మనిషి.

"మన మనిషో, వాళ్ల మనిషో చూద్దాం సార్. నేను మాత్రం పైసా కట్టను. కడితే చస్తాను."

ఇస్త్రీ షాపు మీద గది అద్దెకి తీసుకుంది సూది. కింద ఆవిరి బుసలు, మెట్ల మీద గంజి వాసన. వేషం, ఇస్త్రీ చేసే మనిషి ఏప్రన్. గోల్డ్ రూమ్‌కి డబ్బు కట్టకుండా వెళ్లే దారి గేమ్‌లో ఒక్కటే ఉంది. వంద ప్రకటనలు చూస్తే ఒక్కసారికి చెల్లే అతిథి టికెట్ ఇస్తారు. రోజుకి పది ప్రకటనలే లెక్కలోకి వస్తాయి. అంటే సరిగ్గా పది రోజులు.

ఎంతోమంది గూఢచారులు సరిహద్దులు దాటారు, సముద్రాలు ఈదారు. మన సూది పది రోజులు గుడ్లప్పగించి సబ్బుల ప్రకటనలు చూసింది! నవ్వులాట కాదు. మెట్ల మీద అడుగుల చప్పుడైతే చాలు, పై ప్రాణాలు పైనే పోయేవి. పడుకుంటే మెడ మీద చెయ్యి వేసుకుని పడుకునేది.

మధ్యలో ఆట నేర్చుకుంది. డబ్బు కట్టనివాడి బతుకెంత హీనమో కూడా తెలిసొచ్చింది. ఒంటి మీద బూడిదరంగు యూనిఫాం. చస్తే, డబ్బున్నవాడు చటుక్కున లేచి నిలబడతాడు. లేనివాడు ముప్పై సెకన్లు ప్రకటన చూసి, చచ్చినచోటే లేవాలి. అతిథి టికెట్ వాడికైతే ఇంకో అవమానం. వాడి శవం పడ్డచోట ఆ ముప్పై సెకన్లూ స్పాన్సర్ బోర్డు లేచి నిలబడుతుంది, ఇంటి గోడంత పెద్దది.

శుక్రవారం సాయంత్రం ఒక షాపింగ్ మాల్‌లో నెమలిని కలిసింది. చెప్పుల షాపు. నెమలి ఎర్రటి హీల్స్ తొడుక్కుని అద్దంలో చూసుకుంటోంది. ఆమె వైపు ఒకసారి చూసినవాళ్లు రెండోసారి చూడకుండా వెళ్లరు.

"ఈ హీల్స్‌తో నడవగలనా?" కోడ్ వర్డ్.

"నడవడానికి కాదు, పరిగెత్తడానికి." జవాబు.

నెమలి గొంతు తగ్గించింది. "రేపు పాస్ కొను బంగారం. బిల్లు నా టేబుల్ మీదికే వస్తుంది, నేను మాయం చేసేస్తాను. ఎక్కడినుంచి ఆడుతున్నావో చెప్పు, నీ రక్షణ కోసమే."

సూది ఒక అపార్ట్‌మెంట్ అడ్రస్ చెప్పింది. నాలుగో అంతస్తు, ఎడమవైపు ఫ్లాట్. ఆ ఫ్లాట్‌లో ఉండబోయేవాళ్లకి కాక ఆ అడ్రస్ ఈ లోకంలో నెమలికి ఒక్కదానికే తెలుసు. ఫ్లాట్‌లో ఉండబోయేది పెద్దాయన, ఆరుగురు సాయుధులు, ఒక కొత్త అకౌంటు.

శనివారం, రెండూ యాభై తొమ్మిది.

గోల్డ్ రూమ్ తలుపులు తెరుచుకున్నాయి. పదిమంది సైనికులు. తొమ్మిదిమంది ధగధగ మెరుస్తున్నారు, పదోది బూడిదరంగు సూది. నెత్తి మీద "ఉచిత అతిథి" అని పెద్ద అక్షరాలు. చెవిలో చిన్న ఇయర్‌పీస్, అందులో పెద్దాయన ఊపిరి.

"కార్డ్ రెండింటికే గీకాం. ఇంకా ఎవరూ రాలేదు," అన్నాడాయన.

బావి పక్కన తెల్లగోడ. దాని ముందుకి నెమలి పింఛం కట్టుకున్న సైనికుడు ఒకడు హుందాగా వచ్చాడు. బంగారు తుపాకీ ఎత్తాడు. టక్ టక్ టక్. గోడ మీద గుర్తులు పడ్డాయి. అది అక్క పేరులో మొదటి అక్షరం. టక్ టక్. రెండో అక్షరం. పేరు మొత్తం అయిదక్షరాలు.

ఏం చేయాలో తోచక సూది గోడ వైపు పరిగెత్తింది. పింఛం సైనికుడు చిరాగ్గా తిరిగి ఒక్క తూటా వేశాడు. సూది చచ్చింది.

స్క్రీన్ మీద సబ్బు ప్రకటన మొదలైంది. ఒక తల్లి తెల్లచొక్కా ఆరేస్తూ నవ్వుతోంది. ముప్పై, ఇరవై తొమ్మిది... "అయిపోయింది, అక్క అయిపోయింది," అని జుట్టు పీక్కుంది సూది. అప్పుడు గుర్తొచ్చింది. తను చచ్చింది గోడ ముందు. అంటే ఇప్పుడు గోడకి అడ్డంగా నిలబడి ఉన్నది సబ్బు బోర్డు!

"సార్, గోడ మూసుకుపోయింది! నేను అక్కడే చస్తూ ఉంటే చాలు!"

"ఏంటమ్మా?"

"తర్వాత చెప్తాను!"

ముప్పై సెకన్లు అయ్యాయి. చచ్చినచోటే లేచింది. బోర్డు మాయమైంది. సైనికుడు తుపాకీ ఎత్తి సిద్ధంగా ఉన్నాడు. ఉచితంగా ఇచ్చే గ్రెనేడ్లు మ్యాచ్‌కి నాలుగు. ఒకటి తీసి తన కాళ్ల దగ్గరే పడేసుకుంది. పేలడానికి రెండు సెకన్లు. ఈ లోపల మూడో అక్షరం పడింది. ధడేల్! సూది చచ్చింది. బోర్డు లేచింది. మళ్లీ ఆ తల్లి చొక్కా ఆరేసింది.

సరిగ్గా అప్పుడు ఇయర్‌పీస్‌లో తలుపు బద్దలైన చప్పుడు, అరుపులు. పెద్దాయన రొప్పుతూ అన్నాడు. "వచ్చారు. ఇద్దరు, సిరంజిలతో. దొరికిపోయారు. నెమలే తల్లీ! మన బండి ఆమె ఆఫీసు వీధిలోనే ఉంది. గేటు, లిఫ్టు కలిపి రెండు నిమిషాలు. అందాకా ఎలాగైనా ఆపు!"

రెండో గ్రెనేడ్. సైనికుడు ఈసారి పక్కకి జరిగి నాలుగో అక్షరం సగం కొట్టాడు. మూడో గ్రెనేడ్. సగం పూర్తయింది.

ఫోన్ మోగింది. నంబర్ నెమలిది. ఎత్తకపోతే ఆమె రెండు చేతులూ తుపాకీ మీదే ఉంటాయి. ఎత్తింది.

"ఎక్కడున్నావు బంగారం?" నెమలి గొంతులో తేనె. "ఆ బూడిద పిల్లవి నువ్వే కదూ? నీ అకౌంట్ నా ముందే తెరిచి ఉంది. పేరు లేదు, కార్డ్ లేదు, అడ్రస్ లేదు. ఎలాంటిదానివే నువ్వు?"

"పైసా కట్టనిదాన్ని," అంది సూది.

"మీ అక్కంటే ఇష్టమా?"

సూది నాలుగో గ్రెనేడ్ వేసింది, చచ్చింది. ఫోన్‌లో ఇద్దరి ఊపిర్లు, స్క్రీన్ మీద తెల్లచొక్కా. ప్రకటన వేగంగా అయిపోకూడదని జీవితంలో మొదటిసారి దణ్ణం పెట్టుకుంది.

లేచింది. చేతులు ఖాళీ. ఒక్క అక్షరం మిగిలింది.

ఇక వేరే దారి లేదు. గోడకి వీపు ఆనించి, ఖాళీ జాగాకి అడ్డంగా నిలబడింది. సైనికుడు ఎడమకి జరిగాడు, సూది ఎడమకి జరిగింది. కుడికి జరిగాడు, కుడికి జరిగింది. కొడితే బోర్డు లేస్తుంది, కొట్టకపోతే అక్షరం పడదు. ఫోన్‌లో నెమలి బూతు తిట్టింది. అంత అందమైన మనిషి నోట అలాంటి మాట వస్తుందని సూది ఊహించలేదు. సైనికుడు బావి గట్టెక్కి, సూది తల మీదుగా గురిపెట్టాడు. ఆమె నెత్తి పైన జానెడు సున్నం మిగిలి ఉంది, ఆ అక్షరానికి అది చాలు. సూది కళ్లు మూసుకుని "అక్కా!" అని అరిచింది.

తూటా చప్పుడు రాలేదు.

ఫోన్‌లో కుర్చీ విరిగిన చప్పుడు, తర్వాత మగగొంతు. "చేతులు పైకి! కీబోర్డ్ వదులు!" పింఛం సైనికుడు గురిపెట్టిన తుపాకీతో అలాగే బిగుసుకుపోయాడు. గడియారం సున్నాకి వచ్చింది. మ్యాచ్ ముగిసింది. గోడ తెల్లగా మిగిలింది.

సూది కుర్చీలోంచి నేల మీదికి జారి, బతుకు జీవుడా అని, పది రోజుల ఏడుపూ ఒక్కసారే ఏడ్చింది. గొడుగు కోసం కూడా అప్పుడే ఏడ్చింది.

"నాలుగక్షరాలు చూశారు సార్ వాళ్లు," అంది ఎక్కిళ్ల మధ్య.

"ఆ నాలుగక్షరాలతో మొదలయ్యే పేర్లు ఆ ఆఫీసులో మూడున్నాయి. ఎవరో తేల్చుకునేలోపల మీ అక్క సాయంత్రం గేటు దాటి మన కారెక్కుతుంది. ఇక వెనక్కి వెళ్లదు."

అయిదూ పదికి ఫోన్. అక్క. కారు వెనక సీట్లోంచి చేసింది, చుట్టూ ట్రాఫిక్ మోత.

"ఏమే, ఉన్నట్టుండి ఈ కారేంటి, ఈ హడావిడేంటి? ఎవరూ నోరు విప్పరే! పొద్దున్నించీ అరవై పేజీలు టైపు కొట్టి నా వేళ్లు పడిపోయాయి. నువ్వేం చేశావు ఇవాళంతా?"

సూది కళ్లు తుడుచుకుంది. కేస్ క్లోజయ్యేదాకా చెప్పకూడదు. రూలు రూలే.

"కూర్చుని వీడియో గేమ్ ఆడుకున్నానక్కా."

అవతల అక్క గట్టిగా నిట్టూర్చింది.

"నీకేమే తల్లీ, మహారాణివి. జీతమిచ్చి మరీ ఆడిస్తున్నారు."