పొత్తిళ్లు, నెలకు నూట నలభై తొమ్మిది

గజపతినగరంలో ఆ బ్యాంకు పాస్‌బుక్కులు అచ్చువేసే మిషను బాగుండే రోజు కోసం తిథీ వారం చూసుకోవాలి. ఆ మంగళవారం అది పనిచేస్తోందని తెలిసి గౌరి ఏడో నెల కడుపుతో ఆటో ఎక్కి వచ్చింది. కుట్టుమిషను తొక్కి కూడబెట్టిన డబ్బంతా ప్రసవానికని ఆ ఖాతాలోనే దాస్తోంది. మొదటి కాన్పు. పైగా ఆ ఇంట్లో కాన్పు మాట ఎత్తితే అందరి గొంతులూ తగ్గిపోతాయి. అందుకే ఎవరినీ అడగకుండా తన ఏర్పాటు తను చేసుకుంటోంది.

పుస్తకం బయటికొచ్చింది. వేసిన డబ్బు సరిగ్గానే ఉంది. వేయని లెక్కే ఆరు చోట్ల ఉంది. జులై నుంచి ప్రతి నెలా పదిహేడో తేదీన నూట నలభై తొమ్మిది రూపాయలు పోయాయి. పక్కన ఇంగ్లీషు అక్షరాల్లో ‘పొత్తిళ్లు’ అని ఉంది.

కౌంటర్లో ఉన్న రేఖ పుస్తకం చూసి, గౌరి ఫోను కూడా తీసుకుని చూసింది.

“ఇది ఆటోపే అండీ. కడుపుతో ఉన్నవాళ్లకి వారం వారం బిడ్డ ఎలా ఎదుగుతోందో చెప్పే యాప్. నెల నెలా చందా దానంతటదే పోతుంది. మీరే పెట్టుకుని మరిచిపోయి ఉంటారు.”

“నాను పెట్టలేదండి. జులై పదిహేడుకి కడుపొచ్చిందని నాకే తెల్దు. ఆగస్టులో కదా తెలిసింది.”

రేఖ నవ్వబోయి ఆగింది. “పిన్ కొట్టకుండా ఇది మొదలవదు. మీ పిన్ ఇంకెవరికి తెలుసు?”

తెలిసింది ఒక్కడికే. ఆమె భర్త మురళీమోహన్. ఆ ఫోను కొన్నరోజున పిన్ పెట్టి ఇచ్చింది అతనే.

అనుమానం పెనుభూతం అని ఊరికే అనలేదు. మురళి వ్యానులో కూరగాయలు వేసుకుని వారానికి మూడుసార్లు విశాఖపట్నం వెళ్తాడు. జులైలో గౌరికి కడుపు సంగతి తెలియకపోతే, అప్పటికి కడుపుతో ఉన్నది మరెవరు? పెళ్లాం కుట్టుకూలి డబ్బుతో ఎవరి కడుపులో బిడ్డ ఎదుగుదల చూస్తున్నాడు? బ్యాంకు మెట్ల మీదే నిలబడి ఫోన్ చేసింది. లోపల బిడ్డ రెండుసార్లు తన్నాడు.

“ఎవర్తి బావా అది?”

“ఎవర్తేటి?”

“పొత్తిళ్లు యాప్ ఎవర్తికి కడతన్నావు? కడుపుతో ఉన్నదెవర్తి?”

అవతల ఇంజను చప్పుడు తప్ప మాట లేదు. తర్వాత బాగా తగ్గించిన గొంతుతో అన్నాడు. “ఇంటికొచ్చినాక మాటాడదారి. కడుపు మాట రోడ్డు మీద వొద్దు.” ఫోన్ పెట్టేశాడు. గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నాడనే గౌరి లెక్క వేసుకుంది.

ఇంటికి చేరేసరికి దీపాలు పెట్టే వేళయింది. పుష్యమాసపు మంచు అప్పుడే కళ్లాల మీదికి దిగుతోంది. నూర్చిన గడ్డి వాసన వీధంతా ఉంది. అత్త జగ్గమ్మ పశువులశాలలో దోమలకని వావిలాకు పొగ వేస్తోంది. ఆ పొగ పెరటి గుమ్మంలోంచి నడింట్లోకి పాకుతోంది.

నడింట్లో గోడకి సుహాసిని ఫోటో ఉంది. మురళి మొదటి భార్య. నాలుగేళ్ల కిందట ఏడో నెల కడుపుతో, ఆసుపత్రికి తీసుకెళ్తుండగా దారిలో పోయింది. బిడ్డా దక్కలేదు. గౌరి మెడలో పుస్తెల పక్కన ఉన్న చిన్న బంగారు బిళ్ళ ఆమె పేరు మీదదే. రెండోపెళ్లి పిల్ల మెడలో సవితి బిళ్ళ ఉండాలి. చీరయినా, గాజులయినా కొత్తది ఏది కొన్నా ముందు ఆ ఫోటో ముందు పెట్టాలి. ‘అప్పా, నువ్వు కట్టుకున్నాక నాకియ్యి’ అని అడిగి తీసుకోవాలి. పెళ్లయిన రెండేళ్లలో గౌరి దీన్ని ఒక్కసారి కూడా తప్పలేదు. పోయినామెతో పేచీ ఏముందిలే అనుకునేది.

మంచం మీద కూర్చుని, యాప్ దింపి, తన నంబరు కొట్టింది. కొత్త ఖాతా తెరవమని అడుగుతుందనుకుంది. అడగలేదు.

‘మళ్లీ స్వాగతం, సుహాసిని గారూ. ఇది మీ 29వ వారం.’

గౌరికి మొదట వచ్చింది కోపమే. చచ్చిపోయినదాని పేరు పెట్టి మరీ నాటకమాడుతున్నాడు. కింద ‘తల్లి డైరీ’ అని ఉంటే నొక్కింది. మొదటిది జులై పదిహేడు నాటిది. ఒకటే మాట.

‘ఉన్నాడు.’

తర్వాతవి చదువుకుంటూ పోయింది.

‘ఆగస్టు 9. దానికి చింతకాయ పచ్చడి పడటం లేదు. మానిపించాలి.’

‘అక్టోబరు 30. మొదటిసారి కదిలాడు. అది నిద్రలో ఉంది. నేనే మేలుకుని ఉన్నాను.’

ఆగస్టులో పచ్చడి తిని కక్కుకున్న మాట గౌరి ఎవరికీ చెప్పలేదు. ఇంట్లో ఎవరూ లేనప్పుడు, పెరట్లో... మురళికి తెలిసే దారే లేదు.

చివరిది ఆ రోజుదే.

‘11:40. బ్యాంకు మెట్ల మీద రెండుసార్లు తన్నాడు. అది ఆయనతో గొడవ పడుతోంది. బిడ్డకి మంచిది కాదు.’

చూస్తుండగానే దాని కింద ఇంకో వరుస పడింది.

‘5:52. దానికి నడుం నొప్పి. ఎడమవైపు.’

గౌరి చేయి అప్పటికే ఎడమవైపు నడుం మీద ఉంది.

“అత్తా...” గొంతు పెగల్లేదు. మళ్లీ పిలిచింది. “అత్తా, ఇలగ రా.”

జగ్గమ్మ పొగకి కళ్లు తుడుచుకుంటూ వచ్చింది. ఆమెకి చదువు రాదు. గౌరి ఒక్కొక్కటీ చదివి వినిపించింది. ముసలామె నమ్మలేదనలేదు. అదే గౌరికి ఎక్కువ భయం వేసింది. ఫోటో వైపు చూడకుండా, గోడకి వీపు పెట్టి కూర్చుని, గుసగుసగా అడిగింది.

“ఈ ఫోను కొన్నది ఏనాడే?”

“జులైలో... పదిహేడు.”

“ఆనాడు అప్ప ముందల పెట్టినావు. నాను సూసినాను. అడిగి తీసినావా?”

గౌరి నోరు తెరిచి మూసేసింది. ఆ రోజు పసుపూ కుంకుమా పక్కన కొత్త ఫోను పెట్టి దణ్ణం పెడుతుంటే అది మోగింది. పొందూరు నుంచి తల్లి. గభాల్న అందుకుని, మాట్లాడుతూ వాకిట్లోకి వెళ్లిపోయింది. మళ్లీ అడగలేదు.

“అడగలేదత్తా.”

“మరింకేటి. ఇచ్చినావు. ఇచ్చింది ఆలదే.” జగ్గమ్మ చాలాసేపు ఆగింది. “ఆనాటికి నీ కడుపులో బిడ్డ ఉన్నాడా?”

ఆరో వారం. ఫోనుతో పాటు ఆ ఫోటో ముందు వంగి దణ్ణం పెట్టింది. కడుపులో ఉన్నది కూడా కొత్తదే.

అది తట్టగానే గౌరికి పిచ్చి ధైర్యం వచ్చింది. నా డబ్బు, నా ఫోను, నా బిడ్డ అనుకుంది. రేఖ చూపించిన చోటికి వెళ్లి ఆటోపే రద్దు నొక్కింది. పిన్ అడిగింది. కొట్టింది. తర్వాత పొత్తిళ్లులో చందా కూడా తీసేసింది. తెర తెల్లగా అయిపోయింది. ఎంత తేలికయిన పని. ఇందాకటి నడుం నొప్పి కూడా పోయింది.

జగ్గమ్మ అన్నం వడ్డించింది. గౌరి నాలుగు ముద్దలు తింది. మామూలుగా అన్నం తినగానే బిడ్డ కదులుతాడు. కదల్లేదు. కాసేపు చూసింది. ఆసుపత్రిలో చెప్పినట్టు బెల్లం నీళ్లు తాగి ఎడమవైపు తిరిగి పడుకుంది. లెక్కపెట్టింది.

పది నిమిషాలు. ఇరవై.

ఏమీ లేదు...

కడుపు బరువుగా ఉంది. నీళ్లు నింపిన బిందెలా, అంతే. లోపల ఎవరూ ఉన్నట్టు లేదు.

జగ్గమ్మ చేయి వేసి చూసింది. చెవి పెట్టి వింది. లేచి, వణికే చేత్తో తన చిన్న ఫోను అందించింది. గౌరి అంబులెన్సుకి చేసింది. మంచు దట్టంగా ఉంది, ముప్పావుగంట పడుతుందన్నారు. మురళికి చేసింది. కొత్తవలస దాటానని, వచ్చేస్తున్నానని అన్నాడు. అతని గొంతు విన్నాక గౌరికి పొద్దున్నటి అనుమానం గుర్తొచ్చి సిగ్గేసింది. అతను కడుపు మాట వద్దన్నది భయంతో. ఇంకేమీ కాదు.

ముప్పావుగంట. నాలుగేళ్ల కిందట సుహాసిని పోయిందీ ఆ దారిలోనే.

గౌరి లేచి గోడ పట్టుకుని ఫోటో ముందుకి వెళ్లింది. పొగ ఇంకా తగ్గలేదు. ఫోటోలో ఆమె మామూలుగానే ఉంది. పందొమ్మిది, ఇరవయ్యేళ్ల పిల్ల. చూస్తే జాలేస్తుంది.

“అప్పా, తప్పయిపోనాది,” అంది మెల్లగా. “బిడ్డని ఏటీ సెయ్యకు.”

యాప్ తెరిచింది. చందా మళ్లీ మొదలుపెట్టమని నొక్కింది. ‘తల్లి పేరు’ అని ఖాళీ గడి వచ్చింది. ‘గౌరి’ అని కొట్టింది. నూట నలభై తొమ్మిది పోయాయి. కడుపు మీద చేయి వేసుకుని నిలబడింది.

కదల్లేదు.

జగ్గమ్మ వెనకనుంచి ఏమీ అనలేదు. ఏం చేయాలో ఇద్దరికీ తెలుసు. తన కడుపులో బిడ్డకి ఇంకొకరి పేరు రాయడానికి గౌరికి చేయి ఆడలేదు. ఏడుపు వచ్చింది. ఏడుస్తూనే తన పేరు ఒక్కో అక్షరం చెరిపేసింది. ‘సుహాసిని’ అని కొట్టింది.

తన్నాడు.

ఊపిరి ఆగిపోయేంత గట్టిగా, డొక్కలో. వెంటనే ఇంకోసారి. గౌరి అక్కడే కూలబడింది. జగ్గమ్మ ఆమె కడుపుని రెండు చేతులా పట్టుకుని, “కదిలినాడే, కదిలినాడే తల్లీ,” అంటూ ఏడ్చింది. దూరంగా, మంచులో ఎక్కడో, అంబులెన్సు కూత వినబడింది. అదింకా ఊళ్లోకి రాలేదు.

ఫోను నేల మీద వెలుగుతోంది. తీసుకుందామని వంగిన గౌరి, ముందు ఫోటో వైపు చూసి, “తీస్తానప్పా,” అని అడిగి అందుకుంది.

ఇంతకుముందు లేని పేజీ ఒకటి తెరిచి ఉంది. ‘కుటుంబ సభ్యులు’ అని పైన రాసి ఉంది. కింద రెండు వరుసలు.

తల్లి: సుహాసిని. చందా ప్రతి నెలా కొనసాగుతుంది.

ఆయా: గౌరి. గడువు 40వ వారం వరకు. పొడిగింపు లేదు.