ఎంగిలి పెన్ను

ఆదివారం మధ్యాహ్నం శామీర్‌పేటలో ముసురు పట్టింది. తృప్తి తన అద్దె గదిలో మంచం మీద పాత పేపరు పరిచి, దాని మీద ఒక ల్యాప్‌టాప్ పెట్టుకుంది. ఇటుకంత బరువు. పెన్నుతో తెర మీద రాసే పాతకాలపు రకం. కీబోర్డు విడిగా ఊడి వస్తుంది. రోజూ ఆమెను తుర్కపల్లి ల్యాబులో దింపే క్యాబ్ డ్రైవర్ బాలేష్ తెచ్చిచ్చాడు. వాళ్ల బావమరిదికి దూలపల్లిలో పాత సామాను దుకాణం ఉంది.

"నెట్టు లేదు, యూట్యూబు లేదు. అ ఆలు దిద్దుడు తప్ప దీంట్ల ఏం చెయ్యరాదక్కా," అని నవ్వాడు. "పాపకు బహుమానం ఇస్తున్నవా, శిక్ష ఏస్తున్నవా?"

ఆమెకు కావలసింది అదే. కూతురు వర్ష ఉట్నూరులో అమ్మమ్మ రాధమ్మ దగ్గర రెండో తరగతి చదువుతోంది. తృప్తి పిల్లను పెంచేదంతా ఫోనులోనే. పళ్లు తోమినవా? గోళ్లు తీసినవా? పెన్ను నోట్ల పెట్టుకుంటున్నవా? చివరిదానికి మాత్రం వర్ష ఎప్పుడూ అబద్ధమే చెప్పేది.

తృప్తి కీబోర్డు పట్టి లాగింది. చప్పున రాలేదు. ముదురు పాకంలా సాగి, తడి చప్పుడుతో ఊడింది. అడుగున పసుపుపచ్చ జిగురు. అందులో నెరిసిన వెంట్రుకలు, కొరికి ఊసిన గోళ్ల ముక్కలు. కడగకుండా మూత పెట్టిన పాలగిన్నె వాసన గుప్పుమంది.

పెన్ను ఇంకా రోత. తోక నిండా పంటిగాట్లు. గాట్లలో పాచి కూరుకుపోయి ఉంది.

"ఛీ... ఎవని ఎంగిలో!"

మెడికల్ షాపులో కొన్న స్పిరిటుతో అన్నీ తుడిచింది. చేతులు సబ్బుతో కడుక్కుంది. అనుమానం తీరక మళ్లీ కడుక్కుంది. తర్వాత ల్యాప్‌టాప్ ఆన్ చేసి, వర్షకు వీడియో కాల్ చేసింది.

"చూడు బిడ్డా, నీ కంప్యూటరు."

బూడిదరంగు తెర మీద పెన్నుతో 'వర్ష' అని రాసి చూపించింది.

"మస్తున్నదమ్మా! నా పేరు!"

తృప్తి పెన్ను కింద పెట్టి, ఫోను దిండుకు ఆనించి, మళ్లీ పెన్ను తీసుకుంది. తోక తడిగా ఉంది. వెచ్చగా... వేలికి సన్నటి తీగ సాగింది. వాసన చూసింది. స్పిరిటు కాదు. చొంగ.

గుడ్డ నిండా స్పిరిటు పోసి గట్టిగా రుద్దింది.

"థూ... అమ్మా, చేదు!" ఫోనులో వర్ష మొహం ముడుచుకుపోయింది.

"ఏం తిన్నవే?"

"ఏం తినలే."

వెనక నుంచి రాధమ్మ గొంతు. "పొద్దటి పాలు తప్ప ఏం ముట్టలేదే ఇది. నోట్లకెల్లి దవాఖాన వాసనొస్తాంది, ఏందే గిది?"

పెన్ను మళ్లీ తడిసింది. తృప్తి రోత పట్టలేక మళ్లీ రుద్దింది. అటు వర్ష భళ్లున కక్కింది.

తృప్తి చేతిలోని గుడ్డ జారిపోయింది.

వట్టిదే... అలా ఎలా అవుతుంది? చెమటపట్టిన వేలిని మెల్లగా పెన్ను తోకకు ఆనించింది.

"ఇప్పుడు ఉప్పగున్నదమ్మా..." వర్ష వెక్కుతోంది. "నాలుక మండుతాంది."

పెన్నును కిటికీలోంచి మోరీలోకి విసిరేద్దామని లేచింది. చెయ్యి ఆగిపోయింది. కింద నల్లటి నీళ్లు... వేలి ఉప్పు పిల్ల నోటికి చేరిందంటే, మోరీ నీళ్లు చేరవా?

గ్లాసులో నీళ్లు తీసుకుని కడిగింది. స్పిరిటు ఆ గాట్లలోకి ఇంకిపోయింది, వదలడం లేదు. వర్ష పెదవులు తెల్లబడుతున్నాయి. "నీళ్లు తాపిస్తున్న, తగ్గుతలేదే తృప్తీ!" అని రాధమ్మ ఏడుపు మొదలుపెట్టింది.

చంటిదప్పుడు వర్షకు ముక్కు మూసుకుపోతే, తృప్తి నోటితో పీల్చి ఊసింది. అప్పుడు రాని రోత ఇప్పుడెందుకు? నా బిడ్డ ఎంగిలే కదా...

కళ్లు మూసుకుని పెన్ను నోట్లో పెట్టుకుంది.

మొదట చేదు. పీల్చి ఊసింది. మళ్లీ పీల్చింది. ఈసారి పులిసిన పాలు... దాని వెనకే పొగాకు. డోకు వచ్చింది. మింగి ఆపుకుని, మళ్లీ పీల్చింది.

"అమ్మా... చేదు పోయింది." వర్ష కళ్లు తుడుచుకుంది. మెల్లగా నవ్వింది. "తాతకు గూడ పోయిందంట."

ఆ ఇంట్లో ఉండేది ఇద్దరే. అమ్మమ్మ, మనవరాలు.

"ఏ... తాత?"

నోట్లో పెన్ను ఉండగానే అడిగింది. అడుగుతుంటే నాలుక గాట్ల మీద పారాడింది. ఒక్కో గాటూ వెడల్పుగా ఉంది. మధ్యలో సందులు. పిల్లల పళ్లు కావు.

వర్ష పక్కకు తిరిగి, ఎవరో చూపించమన్నట్టు నోరు పెద్దగా తెరిచింది.

తృప్తి పెన్ను బయటికి లాగబోయింది. రాలేదు. ఇంకోసారి లాగింది. అటు నుంచి ఎవరో పళ్లతో పట్టి గుంజినట్టు... మెల్లగా... లోపలికే పోతోంది.

మంచం మీద తెర వెలుగుతూనే ఉంది. 'వర్ష' కింద గీతలు పడుతున్నాయి. వణుకుతున్న ముసలి చేతిరాత, ఒక్కో అక్షరం దిద్దినట్టు.

'తృప్తి'.