లాభం... రెండు...

ఆయుధ పూజ నాడు పొద్దున్నే నరసింహయ్య ఇంట్లో కడగని వస్తువు లేదు. తక్కెడలు, కత్తులు, ఇత్తడి సేరు, పావు అన్నీ చింతపండుతో తోమి ఎండలో బోర్లించారు. స్కూటరుకు కూడా తలస్నానం అయింది. కన్నడనాట చింతామణి ఊరి బజారులో శనక్కాయలు, చింతపండు అమ్మే ఇల్లు అది. కింద అంగడి, మీద కాపురం. నరసింహయ్య చీపురు పట్టాడంటే బస్తాలను జరిపి మరీ ఊడుస్తాడు. ఊడ్వని మూల నుంచే లక్ష్మి వెళ్లిపోతుందని ఆయన నమ్మకం.

ఇంక మిగిలింది హాల్లో ఉన్న కంప్యూటరు ఒక్కటే.

"ఏమమ్మా చైత్రా, దాంట్లో గేమ్సన్నీ తీసేసినావా లేదా?" అని మెట్ల మీద నుంచే కూతురికి కేకేశాడు. "రేపు దశమి, మంచిరోజు. దాన్ని కిందికి దించి బిల్లింగ్ సాఫ్ట్‌వేర్ ఎక్కిచ్చాల. జాగా లేదని ఎర్రగీత చూపిస్తా ఉండాది."

"తీస్తాలే అప్పా. పూలు తెచ్చినాక తీస్తా. నువ్వు మాత్రం ముట్టుకోవద్దు."

"పండగ మొదలైన కాడి నుంచీ ఇదే మాట. బీసీఏ చదివిన పిల్ల! ఒక కెలసం లేదు, పని లేదు, పొద్దస్తమానం గేమ్స్!"

చైత్ర, తల్లి నాగరత్నతో కలిసి బంతిపూలకూ బూడిద గుమ్మడికాయకూ బజారుకు వెళ్లింది. ఆ రోజు ఆ పిల్ల చేసిన తప్పు అదొక్కటే.

నిజానికి చైత్ర గేములు ఆడేది తక్కువ, తయారు చేసేది ఎక్కువ. 'అవ్వ అంగడి' అని ఒక గేము చేస్తోంది. అంగడికి జనం వస్తారు, శనక్కాయలు అడుగుతారు, ఆడేవాళ్లు సేరుతో కొలిచి పొయ్యాలి. సరిగ్గా కొలిస్తే అవ్వ గొంతు లెక్క పెడుతుంది. కొలత తప్పితే అదే గొంతు తిడుతుంది. ఆ గొంతు ఎవరో అద్దెకిచ్చింది కాదు, సొంత అవ్వ, నరసింహయ్య తల్లి కన్యకమ్మది. భర్త పోయిన తర్వాత అంగడిని ఆమే నడిపింది. ఆ వర్తకుల ఇళ్లలో మొదటి కొలతకు ఒకటి అనరు, లాభం అంటారు. "లాభం... రెండు... మూడు..." అని కన్యకమ్మ పాడినట్టు కొలుస్తుంటే బేరమాడడానికి వచ్చినవాళ్లు బేరం మరిచిపోయేవాళ్లు. ఆ లెక్కను, ఆ తిట్లను, మేకను తరిమే అదిలింపును, నవ్వును చైత్ర ఫోనులో రికార్డు చేసి కంప్యూటరులోకి ఎక్కించింది.

ఉగాది పోయిన తర్వాత ఒక పొద్దున అవ్వకు పక్షవాతం వచ్చింది. కుడిచెయ్యి పడిపోయింది, కాలు ఈడుస్తోంది, మాట పూర్తిగా పోయింది. ఆస్పత్రి హడావిడిలో చైత్ర పాత ఫోను కూడా కిందపడి పనికిరాకుండా పోయింది. కన్యకమ్మ గొంతు ఇప్పుడు ఈ లోకంలో ఒక్కచోటే ఉంది, ఆ గేములో. రెండో కాపీ పెట్టుకోవద్దా అని మీరు అడుగుతారు, నేనూ అడుగుతాను. పెద్ద పెన్ డ్రైవు కొనాలి కొనాలి అనుకుంటూనే ఉండిపోయింది. వాయిదా వెయ్యడానికి చదువుతో పనిలేదు.

తెలిసిన మాటలు వినిపిస్తూ ఉండండి, ఎప్పుడో ఒకప్పుడు నోరు కదలొచ్చు అన్నాడు డాక్టరు. అందుకే మధ్యాహ్నాల్లో తండ్రి అంగడిలో ఉన్నప్పుడు చైత్ర అవ్వను కంప్యూటరు ముందు కూర్చోబెట్టేది. అవ్వ ఎడమచేత్తో బటను నొక్కేది. తన గొంతు తనకే వినిపించేది. పెదవులు ఆ మాట ఆకారంలోకి తిరిగేవి. మాట మాత్రం బయటికి వచ్చేది కాదు. అది ఇద్దరి మధ్యా రహస్యం. గేము పూర్తయ్యాక దీపావళికి తండ్రికి చూపించాలని ఆ పిల్ల ఆశ.

వాళ్లు బజారుకు వెళ్లగానే నరసింహయ్య కంప్యూటరు ముందు కూర్చున్నాడు. అవ్వ కిటికీ పక్కన కుర్చీలో ఉంది.

మొదట తెర మీద ఉన్న గేముల బొమ్మలను కంప్యూటరు చెత్తబుట్టలో వేశాడు. ఎర్రగీత కదల్లేదు. 'బోర్డు పీకేస్తే అంగడి ఖాళీ అయినట్టా' అని తనకు తానే చెప్పుకున్నాడు. ఫోనులో ఒక కన్నడ వీడియో పెట్టుకున్నాడు. సెట్టింగ్సులోకి పోయి ఒక్కొక్క గేమునూ అన్‌ఇన్‌స్టాల్ చెయ్యాలి, తర్వాత మిగిలిన ఫోల్డర్లు కూడా వెతికి తీసెయ్యాలి, అప్పుడే పూర్తిగా పోయినట్టు అంది ఆ వీడియో. ఈ మాట ఆయనకు బాగా నచ్చింది. బస్తా తీసినాక బస్తా కింద ఊడ్వడమే కదా! ఒక్కొక్కటీ తీసేస్తుంటే ఎర్రగీత వెనక్కి తగ్గుతోంది. చివరికి 'గేమ్స్' అని పేరున్న పెద్ద ఫోల్డరు కనిపించింది.

"ఊ... ఊఁ!" అంది అవ్వ.

"ఏమమ్మా, నీళ్లు కావాల్నా?" లేచి గ్లాసు అందించాడు. అవ్వ ఎడమచేత్తో దాన్ని తోసేసింది. నీళ్లు నేలపాలయ్యాయి.

"ఉండు, నాగరత్న వచ్చేస్తాది."

అవ్వ చెయ్యి చాపి కంప్యూటరును చూపించింది. చూపించి తల అడ్డంగా ఊపింది. మళ్లీ చూపించింది.

"ఆఁ, దానికీ పూజ చేస్తామమ్మా. మర్చిపోలేదు."

అవ్వ కళ్లలోంచి నీళ్లు కారిపోయాయి. బజారు బజారంతా వినేలా బతికిన గొంతుకు ఇప్పుడు కొడుక్కి ఒక్క మాట చెప్పుకోవడం చేతకాలేదు. నరసింహయ్య భుజం మీది తువ్వాలుతో తల్లి కళ్లు తుడిచాడు. "పండగ పూట కన్నీళ్లు పెట్టకూడదమ్మా" అని వచ్చి మళ్లీ కూర్చున్నాడు. ఇది చాలా పెద్దది, బుట్టలో పట్టదు, శాశ్వతంగా తీసెయ్యాలా అని కంప్యూటరు అడిగింది. ఆ మిషనుకైనా అడగాలని తోచింది. ఆయన సంతోషంగా అవునని నొక్కాడు.

తర్వాత కంప్యూటరు ఆపేసి, తుడిచి, విభూతి పట్టెలు పెట్టి కుంకుమబొట్టు అద్దాడు. చైత్ర వాళ్లు వచ్చేసరికి దాని ముందు అగరుబత్తి కూడా వెలిగించేశాడు.

"చూడమ్మా, నీ కెలసం నేనే చేసి పెట్టినా. ఎర్రగీత పోయి ఇంత జాగా వచ్చినాది" అని నవ్వాడు.

చైత్ర చేతిలోని పూలబుట్ట జారిపోయింది. "ఏం తీసేసినావప్పా? ఏ ఫోల్డరు?"

"గేమ్స్‌ది. గేమ్స్ అని రాసిపెట్టుంటే దాంట్లో గేమ్స్ కాకుండా శనక్కాయలు ఉంటాయా?"

"దాంట్లో అవ్వ ఉండాదప్పా!"

ఆ అరుపుకు నాగరత్న వంటింట్లోంచి పరుగెత్తుకొచ్చింది. చైత్ర నేల మీద కూలబడి, ఏడుపు మధ్యలో ముక్కలు ముక్కలుగా చెప్పింది. రికార్డింగుల సంగతి, ఫోను సంగతి, మధ్యాహ్నాల సంగతి. నరసింహయ్య మొహంలో నవ్వు ఒకేసారి పోలేదు. పిల్ల చెప్పే ఒక్కో మాటకూ కొంచెం కొంచెంగా ఆరిపోయింది.

"నాకొక మాట చెప్పొద్దా?" అన్నాడు, గొంతు పెంచి.

"చెప్తే ఎప్పుడన్నా విన్నావా? గేమ్ అంటేనే లేస్తావు. ఒక్కసారన్నా నా పక్కన కూర్చుని ఏం చేస్తాండావు పాపా అని అడిగినావా? అవ్వ గొంతు అదొక్కటే ఉన్నిందప్పా. ఇంక యాడుంది? యాడ తెస్తావు?"

ఎలుకల మీద కోపంతో ఇంటికి నిప్పు పెట్టినట్టయింది నరసింహయ్య పని. తల్లి వైపు చూశాడు. కింద పడిన గ్లాసు ఇంకా అక్కడే ఉంది. తల్లి ఎందుకు చెయ్యి చాపిందో, ఎందుకు ఏడ్చిందో అప్పుడు అర్థమైంది. తను తుడిచింది ఏ కన్నీళ్లనో కూడా తెలిసింది.

"యాడో ఒక మూల ఉంటాది. ఆన్ చేసి వెతుకుదాం పట్టు. ఆ గేమ్స్ అన్నీ మళ్లా ఎక్కిస్తే వచ్చేస్తాదేమో" అని కంప్యూటరు దగ్గరికి పరుగెత్తాడు. చైత్ర కూడా లేచింది.

వాళ్లకంటే ముందు అవ్వ చేరుకుంది. ఎవరి సాయమూ లేకుండా కుర్చీలోంచి ఎలా లేచిందో, గోడ పట్టుకుని కాలు ఈడ్చుకుంటూ వెళ్లి, కుంకుమబొట్టు పక్కనున్న ఆన్ బటను మీద ఎడమ అరచెయ్యి పెట్టింది. తల అడ్డంగా ఊపింది.

"అమ్మా, చెయ్యి తియ్యమ్మా."

తియ్యలేదు.

"పూజ అయిన వస్తువు రేపు మళ్లా పూజ చేసిందాకా కదిలించగూడదు కదా" అంది నాగరత్న నెమ్మదిగా. "అత్తమ్మ పట్టు మీకు తెల్దా? తక్కెడనే ముట్టుకోనిచ్చేది కాదు."

"ఇప్పుడు కూడా శాస్త్రమేనా?" చైత్ర అవ్వ చేతిని లాగబోయి ఆగిపోయింది. "నా బతుకంతా పోయినాది దాంట్లో. నువ్వు కూడానా అవ్వా?"

అవ్వ పట్టు వదల్లేదు. ఆయుధ పూజ మీద పట్టుదలో, కొడుకు ఇంకేం చెరిపేస్తాడోనన్న భయమో, అది చెప్పే నోరు ఆమెకు లేదు. చైత్ర ఏడ్చుకుంటూ మిద్దె మీదికి వెళ్లిపోయింది.

అంగడి ముందు గుమ్మడికాయ పగిలింది. వచ్చినవాళ్లకు బొరుగులు, బెల్లం పంచారు. నరసింహయ్య ఒక్క బెల్లం పలుకు కూడా నోట్లో వేసుకోలేదు. బజారంతా దీపాలు పెడుతున్న వేళకు చైత్ర, చిక్కబళ్లాపురంలో పనిచేసే కాలేజి స్నేహితురాలు మంజుశ్రీకి ఫోను చేసింది. ఆశతో కాదు, ఎవరికో ఒకరికి చెప్పుకుని ఏడవడానికి.

మంజుశ్రీ ఆసాంతం విని ఒకటే అడిగింది. "తీసేసినాక మళ్లా ఆన్ చేసినారా? ఏమన్నా ఎక్కించినారా?"

"లేదు. అవ్వ ముట్టుకోనియ్యలేదు. పూజ చేసినామని."

"అబ్బ! మీ అవ్వ కాళ్లకు మొక్కాల. పాత హార్డ్ డిస్కు కదే అది? తీసేస్తే పేరు మాత్రం పోతాది. సరుకు ఉంటాది. దాని మీద ఇంకోటి పడిందంటే అప్పుడు పోతాది. ఆన్ చేసి మళ్లా గేమ్స్ ఎక్కించి ఉంటే అంతే. ఎవరినీ ముట్టుకోనియ్యొద్దు, రేపు వస్తా. అంతా వస్తాదని మాత్రం చెప్పలేను."

చైత్ర మెట్లు దిగి హాల్లోకి వచ్చింది. అవ్వ ఇంకా కంప్యూటరు పక్కనే ఉంది. ఎవరో కుర్చీ జరిపి వేశారు. చెయ్యి బటను మీదే ఉంది. చైత్ర ఆ ఒళ్లో తల పెట్టుకుంది. అవ్వ కుడిచెయ్యి కదలదు, ఎడమచెయ్యి తీయదు. వంగి మనవరాలి తల మీద తన గడ్డం ఆనించింది.

దశమి నాడు పొద్దున పూజ అయ్యాక, నరసింహయ్య తల్లి ముందు చేతులు కట్టుకుని నిలబడి, "ఇంక తియ్యొచ్చా అమ్మా?" అని అడిగాడు. అప్పుడు తీసింది చెయ్యి.

మంజుశ్రీ డిస్కు విప్పి తన లాప్‌టాప్‌కు తగిలించింది. గంటలు గడిచాయి. నరసింహయ్య అంగడి తెరవలేదు. గోడకు ఆనుకుని కూర్చుని, ఇన్నాళ్లూ చూడనిదాన్ని రెప్పవెయ్యకుండా చూశాడు.

"బొమ్మలు చాలా మటుకు పోయినాయి చైత్రా" అంది మంజుశ్రీ చివరికి. "గేము ఇంక ఆడదు. మళ్లా కట్టుకోవాల్సిందే. శబ్దాల్లో కొన్ని వచ్చినట్టుండాయి. పెట్టి చూడు."

మొదటిది బరబరమని ఆగిపోయింది. రెండోది తెరుచుకోనే లేదు. చైత్ర కళ్లు మూసుకుని మూడోది నొక్కింది.

"లాభం... రెండు... మూడు... ఓయ్, సంచి సరిగ్గా పట్టుకోప్పా నరసింహా, చూపు యాడ పెట్టినావు?"

చైత్ర రికార్డు చేస్తున్న రోజున నరసింహయ్య ఆ సంగతి తెలియకుండానే సంచి పట్టుకుని పక్కనే నిలబడ్డాడు. తల్లి అలా పిలవడం ఆయన విని ఎన్నాళ్లయిందో. నరసింహయ్య తువ్వాలు నోట్లో కుక్కుకుని వెక్కి వెక్కి ఏడ్చాడు. పాకుతూ వచ్చి తల్లి పాదాలు పట్టుకున్నాడు. "నీ నోరు నేనే నొక్కేస్తినే అమ్మా" అన్నాడు. తర్వాత కూతురి వైపు తిరిగాడు. క్షమించమన్నట్టు ఆమె చెయ్యి తీసి తన తల మీద పెట్టుకున్నాడు.

"వద్దప్పా" అంది చైత్ర. "నేనూ నీకు చెప్పకపోతిని."

చైత్ర మళ్లీ వినిపించింది. లాభం... రెండు... మూడు... అవ్వ పెదవులు ఎప్పటిలాగే తిరిగాయి. మెడలో నరం ఉబ్బింది.

"లా..."

నరసింహయ్య తల ఎత్తాడు.

"లా... బం."

వంకర తిరిగిన మాట, సగం గాలే. కానీ ఆ మాటే. అవ్వ అక్కడ ఆగి కొడుకు మొహంలోకి చూసింది. కొలిచేటప్పుడు ఎప్పుడూ అలాగే చూసేది. సంచి పట్టుకున్నవాడు లెక్క అందుకోవాలి, అది ఆ అంగడి పద్ధతి.

"రెండమ్మా" అన్నాడు నరసింహయ్య. "రెండు."

అవ్వ మూడు కోసం పెదవులు కూడదీసుకుంది. రాలేదు. మళ్లీ ప్రయత్నించింది.

నాగరత్న కొంగుతో కళ్లు ఒత్తుకుంటూ, "ఏమండీ, బిల్లింగ్ అబ్బాయి కింద నిలబడుండాడు. ఇయ్యాల మంచిరోజు, ఎక్కిచ్చాలంటాడు" అంది.

"పొమ్మను" అన్నాడు నరసింహయ్య. "ఇంకోటి కొనుక్కుంటాంలే. దీంట్లో జాగా అంతా మా అమ్మకే."

అవ్వ ఎడమచెయ్యి చాపి, మళ్లీ వినడానికి లాప్‌టాప్ బటను నొక్కింది.