తాళం తీసినా ఆగని బండి

మా అపార్ట్‌మెంట్ల వెనక వరసగా రేకుల షెడ్లున్నాయి, కార్లు పెట్టుకోవడానికి. వాటిలో చివరి షెడ్డు ముందు నుంచి చీకటి పడ్డాక ఎవరూ నడవరు.

అక్కడ లైటు లేదని కాదు. ఉంది... ఆ లైటు కింద నిలబడ్డా సరే, ఆ షట్టర్ వైపు చూడటానికి మనసొప్పదు. చెత్త పారేయడానికి వెళ్ళేవాళ్ళు చుట్టూ తిరిగి వెళతారు. ఆడుకునే పిల్లలు బంతి అటు దొర్లితే దాన్ని తెల్లారిదాకా మర్చిపోతారు.

ఎందుకంటే ఆ షెడ్డులో ఒక మనిషి పోయాడు. తన కార్లోనే.

నేనిక్కడికి రాకముందు సంగతి అది. ఆయన నూలు మిల్లులో పనిచేసేవాడట. ఎవరి జోలికీ పోని మనిషి. ఒక చలికాలం రాత్రి డ్యూటీ నుంచి వచ్చి, కారు లోపల పెట్టి, షట్టర్ దించుకున్నాడు. పైకి మాత్రం రాలేదు. ఇంట్లోవాళ్ళు వెతుక్కుంటూ వెళ్ళి చూస్తే డ్రైవర్ సీట్లో వెనక్కి వాలి ఉన్నాడు... కునుకు తీస్తున్నట్టు. ట్యాంకులో చుక్క పెట్రోలు లేదు. బ్యాటరీలో ప్రాణం లేదు. అంటే, ఇంజన్ రాత్రంతా తిరిగింది. మూసిన షెడ్డు. నిండా పొగ.

అక్కడిదాకా అందరికీ అర్థమైంది. అర్థం కానిది ఒక్కటే — తాళం.

తాళం ఆయన చొక్కా జేబులో ఉంది.

కొంతమంది గుసగుసలాడారు — "తనే చేసుకున్నాడు. పాత బండి కదా, అరిగిపోయిన తాళం ఇంజన్ తిరుగుతుండగానే ఊడొస్తుంది" అని. ఇంకొంతమంది అసలు అది మనిషి చేసిన పనే కాదన్నారు. ఆ తర్వాత ఎవరెవరో ఒట్టేసి మరీ చెప్పడం మొదలుపెట్టారు... మూసి ఉన్న ఆ షెడ్డులోంచి ఇంజన్ చప్పుడు వస్తోందని. పెట్రోలు లేని బండిది!

ఇప్పుడు నేను చెప్పబోయేది నాకు చెప్పింది ఆయన బావమరిది. కార్లకి కరెంటు పని చేస్తాడు. నా బండి హెడ్‌లైట్లు విప్పి ముందేసుకుని, చేతిలో స్క్రూడ్రైవర్ అలాగే ఉండిపోగా చెప్పాడు. విన్నది విన్నట్టు చెబుతాను.

ఆ ఇంట్లో మిగిలింది ఇద్దరు. ఆయన భార్య, కూతురు చిట్టి. భార్య ఆ రోజు తర్వాత ఆ షెడ్డు దగ్గరికి పోలేదు. గేటుకి వెళ్ళాలంటే అటే దగ్గర దారి. అయినా ఆవిడ రెండు బ్లాకులు చుట్టి వెళ్ళేది. పాపం, దెయ్యానికి భయపడుతోంది అనుకునేవాళ్ళం మేమంతా.

చిట్టి పెద్దదయ్యాక ఒక రక్త పరీక్షల ల్యాబులో చేరింది. ఇళ్ళకి వెళ్ళి రక్తం తీసి, ఐసు పెట్టెలో పెట్టుకుని తీసుకురావడం పని. స్కూటర్ మీద తిరిగేది. ఆ స్కూటర్ పూర్తిగా మూలపడ్డాక, గుడ్డ కప్పుకుని పడి ఉన్న నాన్న కారు గుర్తొచ్చింది.

"ఆ బండి జోలికి వెళ్ళకే," అంది తల్లి.

"ఎందుకమ్మా?"

"వద్దన్నానుగా."

అంతే. కానీ చిట్టి మొండిది. మేనమామని, అంటే నాకీ సంగతి చెప్పినాయన్నే, పట్టుకుంది. ఆయన కొత్త బ్యాటరీ వేశాడు, ట్యాంకు కడిగాడు, టైర్లు, గొట్టాలు మార్చాడు. బండి గురక పెట్టి, దగ్గి, లేచింది. అది గేర్లు దానంతటదే మార్చుకునే రకం. క్లచ్ ఉండదు. ఈ మాట ఎందుకు చెబుతున్నానో కాసేపట్లో తెలుస్తుంది.

కొన్నాళ్ళు బాగానే నడిచింది.

ఒక సాయంత్రం చిట్టి ఊరి చివరిదాకా పోయి, ఎక్కడా ఆపకుండా తిరిగొచ్చింది. షెడ్డులో పెట్టి తాళం తిప్పి తీసేసింది. డాష్‌బోర్డులో లైట్లు ఆరిపోయాయి. ఇంజన్...

ఇంజన్ ఆగలేదు.

చేతిలో తాళం వైపు చూసింది. ఇంజన్ వైపు చూసింది. డోరు తీసి కాలు కింద పెట్టేలోపు — టక్కున ఆగిపోయింది. ఎవరో ఆలోచించుకుని, సరేలే అని ఆపినట్టు.

మర్నాడు మామయ్యని పిలిచింది. ఆయన బానెట్ ఎత్తి, చెవి దగ్గరగా పెట్టి, "తాళం తిప్పు... తియ్యి... మళ్ళీ తిప్పు" అన్నాడు. తిప్పితే టిక్. తీస్తే టిక్. ఎన్నిసార్లు చేసినా అంతే.

"బంగారంలా ఉందే! నిన్న నువ్వే సరిగ్గా తిప్పి ఉండవు," అన్నాడు.

"తాళం నా చేతిలో ఉంది మామయ్యా."

ఆయన బానెట్ దించేశాడు. "ఆ క్షణంలో నాక్కూడా వెన్నులో చలి పుట్టిందండీ. బయటికి చెప్పలేదు గానీ," అన్నాడు నాతో.

మళ్ళీ జరిగింది వానపడుతున్న రోజు. మామూలు వాన కాదు. పక్కవాడు అరిచినా వినపడనంత వాన. చిట్టి ఆ రోజు కూడా దూరం పోయొచ్చింది. ముందుకి తోలి షెడ్డులో పెట్టింది. జల్లు లోపలికి కొడుతోంది, వెనక సీట్లో ఐసు పెట్టె, దూది, సూదుల సంచి. తడిసిపోతాయని కిందకి దిగి షట్టర్ లాగేసింది. గబగబా, ఒక చేత్తో, ఒక పక్కనుంచి.

వచ్చి కూర్చుని తాళం తీసింది.

ఇంజన్ తిరుగుతూనే ఉంది.

ఆగుతుందిలే అనుకుంది. మొన్న ఆగింది కదా. కూర్చుంది. చూసింది. తాళం మళ్ళీ పెట్టి, తిప్పి, మళ్ళీ తీసింది. దానికేమీ పట్టనట్టు, నింపాదిగా, ఒకే లయలో... తిరుగుతూనే ఉంది.

అప్పుడు గుర్తొచ్చింది. మూసిన షెడ్డు. పొగ. నాన్న.

పరుగున షట్టర్ దగ్గరికి వెళ్ళింది. లేవలేదు. ఒంటి చేత్తో లాగినప్పుడు వంకరగా దిగి గాడిలో బిగుసుకుపోయింది. రెండు చేతులా ఎత్తింది, భుజం పెట్టింది, కాలితో తన్నింది. పొగ గొట్టం అటువైపే... వెచ్చటి పొగ కాళ్ళకి తగులుతోంది. బయటికి దారి ఎటో, పొగా అటే.

రేకుల్ని బాదింది. అరిచింది. పైన వాన ఆ కేకని మింగేసింది.

రివర్స్ వేసి షట్టర్‌ని గుద్దేద్దామని మళ్ళీ కార్లో కూర్చుంది. కానీ షెడ్డు చిన్నది. వెనక జానెడు చోటు. ఊపు లేదు. బంపర్ వెళ్ళి నెడితే షట్టర్ ఉబ్బింది తప్ప తెగలేదు. ఇంకా బిగుసుకుంది.

తల బరువెక్కింది. కణతల దగ్గర ఎవరో వేళ్ళతో నొక్కుతున్నట్టుంది. పక్క సీట్లో ఎవరో కూర్చున్నారనిపించింది. తిరిగి చూడలేదు. చూస్తే నిజమవుతుందేమోనని...

మామయ్యకి ఫోన్ చేసింది.

"మామయ్యా... బండి ఆగట్లేదు."

"తాళం తియ్యవే!"

"నా చేతిలోనే ఉంది."

"షట్టర్ తియ్యి."

"రావట్లేదు మామయ్యా... పొగ..."

మామూలు బండైతే గేర్లో వేసి, బ్రేకు తొక్కి, క్లచ్ వదిలేయమనేవాడు. చచ్చినట్టు ఆగుతుంది. దీనికి ఆ దారి లేదు.

"చిట్టీ, విను. ఏడవకు. బానెట్ ఎత్తు. బ్యాటరీ పక్కన నల్లటి పెట్టె ఉంటుంది. మూత లాగెయ్. లోపల అగ్గిపెట్టెల్లా చిన్న చిన్న ముక్కలుంటాయి — రిలేలు. ఇంజన్‌కి కరెంటు ఇచ్చేది వాటిలోనే ఉంది. పీకెయ్!"

"ఏది?"

"అన్నీ పీకు! ఏది ఇంజన్‌దో ఇప్పుడు నాకు..."

లైను కట్ అయిపోయింది.

ఫోన్ లైటు నోట్లో కరుచుకుంది. బానెట్ ఎత్తింది. వేడి ముఖాన కొట్టింది. నల్ల పెట్టె దొరికింది. మూత దొరికింది. అది తీయడానికి నొక్కు ఎక్కడుందో చేతులకి అందలేదు... అందింది.

మొదటిది పీకింది. ఫ్యాన్ ఆగింది. ఇంజన్ ఆగలేదు.

రెండోది. ఏమీ కాలేదు.

కళ్ళ ముందు లైటు రెండుగా కనిపిస్తోంది. ఒక్క నిమిషం ఆ బంపర్ మీద తల ఆనించుకుంటే ఎంత హాయిగా ఉంటుందో అనిపించిందట. ఒక్క నిమిషం... ఆ హాయిని చూసే తను భయపడిందట, ఇంజన్‌ని చూసి కాదు.

మూడోది రాలేదు. పెనం మీద చెయ్యి పెట్టినట్టు కాలుతోంది. గోళ్ళు దూర్చింది. అటూ ఇటూ ఊపింది. చర్మం అంటుకుపోయింది. పళ్ళు బిగించి ఒక్క గుంజు గుంజింది —

ఇంజన్ చచ్చిపోయింది.

వాన చప్పుడు ఒక్కసారిగా షెడ్డంతా నిండింది. ఫోన్ నోట్లోంచి జారిపడి లైటు ఆరిపోయింది. ఆ చీకట్లో ఎవరో ఆయాసపడుతున్నారు. గట్టిగా, రొప్పుతూ... కాసేపటికి గానీ తెలియలేదు, ఆ ఆయాసం తనదేనని.

గోడకీ కారుకీ మధ్య పాక్కుంటూ షట్టర్ దాకా వెళ్ళింది. వంకరగా దిగిన మూల కింద బెత్తెడు సందు ఉంది. అక్కడ మూతి పెట్టి పడుకుంది. వాన నీళ్ళు నోట్లోకి కొడుతున్నాయి. వాటితోపాటే గాలి. మామయ్య గునపం తెచ్చి షట్టర్ పెకలించేదాకా అలాగే ఉంది.

ఆస్పత్రిలో ముక్కుకి ఆక్సిజన్ పెట్టారు. ప్రాణానికి భయం లేదన్నారు.

మర్నాడు పొద్దున మామయ్య వార్డుకి వచ్చాడు. మంచం పక్కన కుర్చీలో తల్లి కూర్చుని ఉంది. కూతురి కాలిన వేళ్ళు ఒళ్ళో పెట్టుకుని వాటినే చూస్తోంది.

మామయ్య జేబులోంచి ఆ రిలే తీశాడు. పైన డొప్ప ఊడదీసి ఉంది.

"ఇదే నీ దెయ్యం," అన్నాడు చిట్టితో. "లోపల ఈ రెండు రేకులు చూడు. తాళం తిప్పితే కలవాలి, తీస్తే విడిపోవాలి. బాగా వేడెక్కితే వీటి మొనలు కరిగి అతుక్కుపోతున్నాయి. ఇంక నువ్వు తాళం తీస్తే ఏంటి, సముద్రంలో పారేస్తే ఏంటి, కరెంటు పోతూనే ఉంటుంది. చల్లబడితే మళ్ళీ విడిపోతుంది. అందుకే ఆ రోజు నాకు దొరకలేదు, దొంగముండ."

"కొత్తగా వచ్చిందా మామయ్యా ఇది?"

ఆయన దాన్ని కిటికీ వెలుతురులోకి తిప్పాడు. రేకుల మీద మాడు పొరలు పొరలుగా ఉంది. నలుపు మీద నలుపు.

"కాదే... ఇది చాలా ఏళ్ళది. బండిలో అన్నీ మార్చాను గానీ, ఈ పెట్టె ముట్టుకోలే..."

మాట సగంలో ఆగిపోయింది. ఏం చెబుతున్నాడో ఆయనకి అప్పుడే తెలిసింది.

ముందు నోరు విప్పింది తల్లి.

"అంటే... ఆయన తాళం తీసేశారా?"

"తీశాడక్కా." ఆయన రిలేని మంచం మీద పెట్టేశాడు. "బావ బండి ఆపేశాడు. ఆగిపోయిందనుకుని జేబులో వేసుకున్నాడు. డ్యూటీ నుంచి వచ్చాక కాసేపు కళ్ళు మూసుకుంటే గానీ మెట్లెక్కలేననేవాడుగా..."

"మరి అంత చప్పుడు?" అంది చిట్టి. "వినపడదా నాన్నకి?"

అక్కాతమ్ముళ్ళు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. మిల్లులో అన్నేళ్ళు మిషన్ల మధ్య నిలబడ్డ మనిషి. ఇంట్లో కుక్కర్ కూతపెట్టినా తల తిప్పేవాడు కాదు. ఒళ్ళంతా రోజంతా అదిరిన మనిషికి సీటు కింద ఆ కాస్త అదురు ఏం తెలుస్తుంది?

ఆవిడ మెల్లగా, గోడకి చెప్పుకుంటున్నట్టు అంది —

"ఆ పొద్దున గొడవపడ్డాం. ఇంటికి రాకపోయినా ఇక్కడ ఏడ్చేవాళ్ళెవరూ లేరన్నాను. రాత్రి వచ్చారు... కిందే ఆగిపోయారు. నా మాటకే ఆగిపోయారనుకున్నాను."

అప్పుడు తెలిసింది తమ్ముడికి. ఇన్నేళ్ళూ ఆవిడ రెండు బ్లాకులు చుట్టి నడిచింది దెయ్యానికి భయపడి కాదు.

చిట్టి తల్లి చెయ్యి పట్టుకోబోయింది. ఆవిడ విదిలించుకుని లేచి నిలబడింది. మంచం అవతల ఖాళీ స్టూలు వైపు తిరిగింది. ముఖమంతా ఎర్రగా అయిపోయింది.

"చెవులు చూపించుకోండి, చూపించుకోండి అని ఎన్నిసార్లు మొత్తుకున్నానండీ మీకు!" అని కేకేసింది. "విన్నారా? నాకు బాగానే వినపడుతోంది, నువ్వే గొణుగుతున్నావు అనేవారే! డాక్టర్ దగ్గరికి రమ్మంటే రేపు, ఎల్లుండి! పౌరుషం ఒకటి! ఇప్పుడు చెప్పండి... ఎవరు గొణిగారో చెప్పండి!"

వార్డంతా లేచి కూర్చుంది. నర్సు పరుగున వచ్చింది.

"ఏంటమ్మా ఈ కేకలు? పేషెంట్లున్నారిక్కడ. ఎవర్ని తిడుతున్నారు?"

"మా ఆయన్ని," అందావిడ, చెంపల మీద నీళ్ళు తుడుచుకోకుండానే. "ఇంకా అయిపోలేదు. నువ్వు కాస్త ఆగమ్మా."