మిగిలిన దూరం

పిచ్చుకకి ఆ పేరు పెట్టింది వాళ్ళ బాబాయే. చిన్నప్పుడు పిట్టంత పిల్ల. విప్పిపడేసిన కంప్యూటర్ల మధ్య కూర్చుంటే తల కూడా కనిపించేది కాదు. ఇప్పుడు ముప్ఫై రెండేళ్ళొచ్చాయి, రిపేరు షాపు మొత్తం తన చేతుల మీదే నడుస్తోంది, అయినా వీధిలో అందరికీ పిచ్చుకే. పోయిన ఫైళ్ళు వెతికి తేవడంలో ఆమెకి మంచి పేరుంది. ఎక్కడో నక్కి కూర్చున్న ఫోటోలనీ, సగంలో చచ్చిపోయిన ప్రాజెక్టు రిపోర్టులనీ చెవి పట్టుకుని లాక్కొస్తుందని బాబాయి వచ్చిన వాళ్ళందరికీ చెప్పుకుంటాడు.

ఆ రోజు పొద్దున్నుంచీ ముసురు. భోజనాలయ్యాక ఫోను మోగింది. రెండు వీధుల అవతల ఉండే టైలరమ్మ.

"ఒక ఆట దాచిపెట్టాలి అమ్మాయీ. మా ఆయన ఆడుకునేది. కంప్యూటరు రెండ్రోజుల నుంచీ టక్కు టక్కుమంటోంది. ఇవాళే రావాలి. నాలుగు లోపల రావాలి."

బాబాయి నవ్వాడు. "ఆటలకి కూడా నీ చేతి వైద్యమేనా? వెళ్ళిరా, ఆవిడ పాపం ఒక్కతే ఉంటోంది."

పిచ్చుక లాప్‌టాప్‌నీ, ఖాళీ డిస్కునీ సంచిలో వేసుకుని గొడుగు తీసింది.

టైలరమ్మ ఇల్లు వీధి చివర. ముందు గదిలో కుట్టుమిషను, మేకుకి వేలాడుతున్న కాగితం కటింగులు, మూలన కొత్తగుడ్డ వాసన. ఆవిడకి అరవై దాటి ఉంటాయి. మెడలో టేపు అలాగే ఉంచుకుని వెనక గది తలుపు తీసింది.

లోపల ఒకటే కిటికీ, దానికి మందపాటి పరదా. బల్ల మీద పాతకాలపు కంప్యూటరు. బల్ల అంచుకి ఆటల కోసం అమ్మే ప్లాస్టిక్ స్టీరింగు ఒకటి బిగించి ఉంది. దాని ఎదురుగా కుర్చీ. కుర్చీ చేతుల మీద రంగు అరిగిపోయి తెల్లబడింది.

"ముప్ఫయ్యొక్క ఏళ్ళు బస్సు తోలారు," అంది టైలరమ్మ గుమ్మంలోనే నిలబడి. "కళ్ళకి ఆపరేషను పాడై ఉద్యోగం మానేశాక ఇంట్లో కాలు నిలవలేదు. మా మేనల్లుడు ఈ బస్సు ఆట పెట్టిచ్చాడు. రూట్లు మనమే గీసుకోవచ్చట. ఆయన ఎక్కడెక్కడి నుంచో మొదలుపెట్టి మన వీధి దాకా ఒక పెద్ద రూటు గీసుకున్నారు. చివరి స్టాపు మన గేటే. పెద్ద తెర ముందు, ముక్కు ఆనించి తోలేవారు."

"ఎప్పుడు పోయారు పిన్నిగారూ?"

"ఎనిమిది నెలలైంది. ఇక్కడే. నాలుగుంపావుకి టీ తెచ్చాను, అప్పటికే… చేతులు స్టీరింగు మీదే ఉన్నాయి."

పిచ్చుక కుర్చీని ముట్టుకోకుండా పక్కకి వంగింది. కంప్యూటరు ఆన్ చేసింది. లోపల డిస్కు గొంతులో ఏదో అడ్డం పడ్డట్టు టక్… టక్… అని కొట్టుకుని, ఎలాగోలా లేచింది. పోయే డిస్కు చప్పుడు ఆమెకి కొత్త కాదు. గంటో, రెండు గంటలో.

ఆటలు, ఎక్కడిదాకా ఆడామో రాసుకునే తమ సేవ్ ఫైళ్ళని ఒక్కోటి ఒక్కోచోట దాచుకుంటాయి. కొన్ని డాక్యుమెంట్స్‌లో పెట్టేస్తాయి, కొన్ని కంటికి కనపడని ఫోల్డర్లలోకి దూరతాయి. పిచ్చుక డాక్యుమెంట్స్ చూసింది, లేదు. ఆట ఉన్న ఫోల్డరు చూసింది, అక్కడా లేదు. దాగిన ఫోల్డర్లు కనిపించేలా మార్చి, యూజర్ పేరు కింద ఒక్కొక్కటీ తెరుచుకుంటూ వెళ్ళింది. దొరికింది. 'సేవ్స్' అని ఉంది. తెరిస్తే తెర కింద దాకా ఫైళ్ళు.

తేదీల వరసలో పెట్టింది. చేయి ఆగిపోయింది.

అన్నిటికంటే పైనున్న ఫైలు నిన్నటిది. సాయంత్రం నాలుగూ పది. దాని కిందది మొన్నటిది. నాలుగూ పది. దాని కిందది అటు మొన్నటిది…

రెండు వందల నలభై మూడు ఫైళ్ళు. రోజుకొకటి. అన్నీ నాలుగూ పదికే.

"పిన్నిగారూ, మీరు ఆడుతున్నారా దీన్ని?"

"నాకు ఆ మౌసు పట్టుకోవడం కూడా రాదమ్మా."

"మరి ఇంకెవరు?"

టైలరమ్మ మెడలో టేపుని వేలికి చుట్టుకుంది, విప్పింది. "డ్యూటీ రోజుల్లో నాలుక్కి ఇంటికొచ్చేవారు. అందుకని రోజూ నాలుక్కి నేను స్విచ్చేసి, తలుపు మూసి, అవతల మిషను దగ్గర కూర్చుంటాను. ఐదింటికి ఆపేస్తాను. అంతే. నేనేం ముట్టుకోను."

గడియారం తప్పుగా ఉందేమోనని పిచ్చుక చూసింది. సరిగ్గానే ఉంది. ఇంటర్నెట్ లేదు. బయటి నుంచి ఎవరూ వచ్చే దారి లేదు. ఆట దానంతటదే మొదలయ్యేలా ఎవరైనా పెట్టారేమో అని వెతికింది. అదీ లేదు. సరే, ముందు పని కానీ అనుకుంది. సేవ్ ఫైళ్ళతో పాటు ఆట ఫోల్డరు మొత్తం తన డిస్కులోకి కాపీ పెట్టింది. ఆకుపచ్చ గీత చీమలా పాకుతోంది. డిస్కు కొట్టుకుంటోంది. కిటికీ మూసి ఉన్న ఆ గదిలో డీజిల్ వాసన లీలగా తగులుతోందని అప్పుడు గమనించింది.

నాలుగు కావస్తుండగా కాపీ అయింది. తెరుచుకుని చూసుకుంటే తప్ప కాపీని నమ్మకూడదన్నది ఆమె పద్ధతి. తన లాప్‌టాప్‌కి డిస్కు తగిలించి, అందులోంచే ఆట తెరిచింది. సేవ్ చేసినవన్నీ వరసగా వచ్చాయి. ఒక్కోదాని పక్కన రెండు ముక్కలు రాసి ఉన్నాయి.

మిగిలిన దూరం, 243 కిలోమీటర్లు. ప్రయాణికులు, 0. అది ఆయన పోయిన రోజుది.

మర్నాటిది 242. ప్రయాణికులు, 1.

ఆ మర్నాటిది 241. ప్రయాణికులు, 1.

పిచ్చుక గబగబా పైకి జరిపింది. రోజుకో కిలోమీటరు. ఒక్క రోజూ తప్పలేదు. మధ్యలో ఒక్కరూ ఎక్కలేదు, ఒక్కరూ దిగలేదు.

నిన్నటిది. మిగిలిన దూరం, 1 కిలోమీటరు.

"ఇది మీకు తెలుసా?" అంది పిచ్చుక.

"మొన్నే మా మేనల్లుడొచ్చి తెరిచి చూపించాడు," అంది టైలరమ్మ. ఆవిడ కళ్ళు మెరుస్తున్నాయి. "ఇంటికొస్తున్నారమ్మా. ఇవాళ వచ్చేస్తారు. ఇంత దూరం వచ్చాక ఈ పాడు కంప్యూటరు…"

ఆవిడ మాట పూర్తికాకుండానే పాత డిస్కు ఒక్కసారి గట్టిగా కొట్టుకుని ఆగిపోయింది. తెర నల్లబడింది. కంప్యూటరు ఫ్యాను తిరగడం మానేసింది. గదిలో చినుకుల చప్పుడొక్కటే మిగిలింది.

టైలరమ్మ ఆ నల్ల తెరని కొంగుతో తుడిచి చూసింది. తర్వాత పిచ్చుక పక్కన మోకాళ్ళ మీద కూర్చుండిపోయింది.

"నీ దాంట్లో ఉందిగా. అందులో పెట్టు తల్లీ."

"పిన్నిగారూ, నాకెందుకో ఇది…"

"రెండు వందల నలభై రోజులు తలుపవతల కూర్చున్నాను. ఒక్క కిలోమీటరు. అంతే అడుగుతున్నా."

పిచ్చుక వద్దనాలి. వద్దనే అనుకుంది. కానీ తన మోకాలి మీద వేసిన చేయి ఆవిడ తీయలేదు. పిచ్చుక నిన్నటి ఫైలు మీద నొక్కింది.

బస్సు ముందద్దం వచ్చింది. బూడిదరంగు రోడ్డు. ఎక్కడా మనిషి లేడు. పిచ్చుక రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుంది, ఏ మీటా ముట్టుకోకుండా. లాప్‌టాప్ గడియారం నాలుగూ తొమ్మిది చూపిస్తోంది.

నాలుగూ పది.

బస్సు కదిలింది.

డ్రైవరు తల పైనున్న అద్దంలో వెనక సీట్లు కనిపిస్తున్నాయి. అన్నీ ఖాళీ. చిట్టచివరి సీట్లో మాత్రం ఒక మనిషి. ఖాకీ చొక్కా. తల వంచుకుని ఉన్నాడు.

"ఆయనే," అని గొణిగింది టైలరమ్మ. "ఆ కాలరు చూడు… నేను కుట్టిందే. ఆయనే."

పిచ్చుక తెరకి దగ్గరగా వంగింది. ఆయన వెనక సీట్లో ఉంటే…

"మరి… బస్సు ఎవరు తోలుతున్నారు?"

టైలరమ్మ వినలేదు. ఆవిడ చూపంతా అద్దం మీదే ఉంది.

తెరలో స్టీరింగు మీద రెండు చేతులున్నాయి. ఆటల్లో ఉండే బొమ్మ చేతుల్లా లేవు. మరీ సన్నగా, మరీ పొడుగ్గా… వేళ్ళకి ఒక కణుపు ఎక్కువున్నట్టు. అవి ఎడమకి తిప్పాయి. వాటితో పాటే, బల్ల అంచుకి బిగించిన ప్లాస్టిక్ స్టీరింగు కూడా ఎడమకి తిరిగింది.

దాని వైరు దేనికీ తగిలించి లేదు. ఆగిపోయిన కంప్యూటరు వెనక నేల మీద పడి ఉంది.

మిగిలిన దూరం, 0.6.

రోడ్డు పక్కన ఇళ్ళు మొదలయ్యాయి. స్టాపులు వస్తున్నాయి, పోతున్నాయి. బస్సు ఒక్క చోటా ఆగలేదు.

"ఆయనెప్పుడూ స్టాపు వదిలేసేవారు కాదు," అంది టైలరమ్మ నెమ్మదిగా. మొదటిసారి ఆవిడ గొంతులో ఏదో తడబాటు.

0.3.

డీజిల్ వాసన గదంతా నిండిపోయింది. పిచ్చుకకి గొంతు మండుతోంది.

0.1.

వీధి మలుపు. గోడలు. గేటు. ఆయన చేత్తో గీసుకున్న వంకరటింకర గేటు. బస్సు ఆగింది. తలుపు బుస్సుమని తెరుచుకుంది.

అద్దంలో చివరి సీటు ఖాళీ.

"దిగారు," అంది టైలరమ్మ. లేచి నిలబడింది. చెదిరిన జుట్టు సర్దుకుంది.

పిచ్చుక మాత్రం తెర వైపే చూస్తోంది. స్టీరింగు మీంచి ఆ రెండు చేతులూ మెల్లగా లేచాయి. ముందద్దం కిందికి జారినట్టయింది. కాదు… కూర్చున్న మనిషి లేచాడు. చూపు పక్కకి తిరిగింది. సీట్లు. మెట్లు. తెరిచి ఉన్న తలుపు. ఒక మెట్టు… ఇంకో మెట్టు…

పిచ్చుక లాప్‌టాప్ మూసేసింది. డిస్కు తీగ పీకేసింది.

బయట, నిజంగానే బయట, గేటు గొళ్ళెం తీసిన చప్పుడైంది.

"వెళ్ళకండి," అంది పిచ్చుక గుసగుసగా. "పిన్నిగారూ, తలుపు తీయకండి. ఆయన ఒక్కరే కాదు."

"నన్నెవరేం చేస్తారమ్మా," అంది టైలరమ్మ. పెళ్ళికూతురిలా నవ్వింది. ముందు గదిలోకి వెళ్ళిపోయింది.

తర్వాత ఎన్నిసార్లు తలుచుకున్నా పిచ్చుకకి సిగ్గనిపించేది ఒక్కటే. ఆవిణ్ణి ఆపలేదు. లాప్‌టాప్‌నీ, డిస్కునీ గుండెకి అదుముకుని వంటింటి తలుపు తీసుకుని పెరటిలోంచి పరిగెత్తింది. ముందు తలుపు తెరుచుకున్న చప్పుడు వీపు మీద పడింది. వెనక్కి తిరిగి చూడలేదు. గొడుగు అక్కడే వదిలేసింది.

మూడు రోజులు ఆమెకి జ్వరం. నాలుగో రోజు షాపుకొచ్చింది. బాబాయి ఏమైందని అడిగితే తడిశానంది. మధ్యాహ్నం ఫోను మోగింది.

"అమ్మాయీ." టైలరమ్మే. నోటికి చేయి అడ్డం పెట్టుకుని మాట్లాడుతున్నట్టుంది.

పిచ్చుకకి ప్రాణం లేచొచ్చింది. "పిన్నిగారూ, బాగున్నారా? ఆయన… వచ్చారా?"

"వచ్చారు." అవతల తలుపు దగ్గరికేసిన చప్పుడు. "ఏం మాట్లాడరు. తల వంచుకుని కూర్చుంటారు. మాట్లాడేదంతా ఆ రెండో మనిషే."

"ఎవరతను?"

"పేరు చెప్పడు. వెళ్ళమంటే వెళ్ళడు. రోజంతా ఆ వెనక గదిలో…" గొంతు ఇంకా తగ్గింది. "నీ గురించే అడుగుతున్నాడమ్మా. ఈ ఆట ఇంకో చోట కూడా ఉందిగా, అది ఎవరి దగ్గరుంది అని. నేను చెప్పలేదు. ఒట్టు, నేను చెప్పలేదు."

ఫోను కట్టయింది. పిచ్చుక తిరిగి చేసింది. మోగుతూనే ఉంది, ఎవరూ తీయలేదు.

బాబాయిని వెంటబెట్టుకుని వెళ్ళింది. ఇంటికి లోపల్నుంచి గడియ. ఎంత పిలిచినా పలుకు లేదు. లోపల కుట్టుమిషను మాత్రం ఆగకుండా నడుస్తోంది. "పనిలో ఉన్నట్టుంది, వినపడలేదేమో," అన్నాడు బాబాయి. ఆ మిషను చప్పుడు అంత వేగంగా ఒక మనిషి కాళ్ళతో తొక్కితే వచ్చేది కాదని పిచ్చుక ఆయనకి చెప్పలేదు.

షాపుకి రాగానే డిస్కు తీసింది. అందులో ఏముందో తెరిచి చూడలేదు. మొత్తం చెరిపేసింది. చెరిపిన చోట ఇక ఎవరూ వెతికి తేలేకుండా సున్నాలు నింపింది, ఒకసారి కాదు, మూడుసార్లు. లాప్‌టాప్‌లో ఆట తాలూకు జాడలన్నీ ఏరిపారేసింది. అంతటితో ఊరుకోక, డిస్కుని విప్పి లోపలి పళ్ళేన్ని సుత్తితో కొట్టింది. బాబాయి వింతగా చూశాడు గానీ ఏమీ అడగలేదు. ఇరవై ఏళ్ళుగా ఫైళ్ళు బతికించిన చేతులతో ఒకదాన్ని చంపడం అదే మొదలు. చేతులు కడుక్కుని, కుర్చీలో వెనక్కి వాలి, ఆ వారంలో మొదటిసారి ఊపిరి పీల్చుకుంది.

ఫోను మోగింది.

ఈసారి టైలరమ్మ గుసగుసలాడలేదు. పాఠం అప్పజెప్పినట్టు, ఒక్కో మాటా విడివిడిగా పలికింది. పక్కన ఎవరో అందిస్తుంటే చెప్తున్నట్టుంది.

"చెరిపేశావట కదమ్మా."

పిచ్చుక చూపు సుత్తి పక్కనే పగిలి పడున్న పళ్ళెం మీద పడింది.

"ఏం ఫర్వాలేదన్నాడు. ఆ రోజు నువ్వు పెరటి దారిన మీ ఇంటి దాకా పరిగెడుతుంటే చూశాడట. ఇల్లు గుర్తుపెట్టుకున్నాడట."