పలుగుమిట్ట

ఆకివీడులో బస్సు దిగి ఆటో ఎక్కేసరికి పదకొండయింది. ఎండ మాడ్చేస్తోంది. కొల్లేటికోట వైపు రావడం ఇది తొమ్మిదోసారి. ఆటో అతను నన్ను గుర్తుపట్టి బేరమాడడం కూడా మానేశాడు.

మా తమ్ముడు తరుణ్ కార్తీకమాసంలో కొల్లేట్లోకి వెళ్ళాడు. బోల్తాపడిన పడవ దొరికింది, మనిషి దొరకలేదు. శవం లేదు కాబట్టి పోయాడని ఏ ఆఫీసులోనూ రాసివ్వరు. కర్మ చేద్దామంటే మా మరదలు కుసుమ ఒప్పుకోదు. చూసినవాళ్ళు ఒక్కరైనా చెబితేగాని చెయ్యనంటుంది. ఆరు నెలలుగా గుమ్మం వైపు చూస్తూ కూర్చుంది.

ఆ రోజు రేవులో నలభై మంది ఉన్నారట. వెళ్ళి అడిగితే కుర్చీ వేస్తారు, మజ్జిగ ఇస్తారు. "తెలీదండీ" అంటారు. ఎంత మర్యాదగా అంటారంటే, విని విని నాకు వాళ్ళ చెంప పగలగొట్టాలనిపించేది.

కిందటిసారి చేపల చెరువు కాపలాదారు జ్ఞానయ్య నా మీద జాలిపడి అసలు సంగతి చెప్పాడు. లంక చివర పలుగురాళ్ళ మిట్ట ఉందట. ఎవరైనా నీట పోతే, చూసినవాళ్ళంతా వెళ్ళి చూసింది చూసినట్టు ఆ రాళ్ళకి చెప్పుకుని వస్తారట. చెప్పుకున్నది ఇక వాళ్ళకి గుర్తుండదు. గుర్తుంటే మళ్ళీ అవే నీళ్ళలోకి వేటకెలా దిగుతామండీ, అన్నాడు. నాకు ఒళ్ళు మండిపోయింది. నా తమ్ముడి చావుని తీసుకెళ్ళి రాళ్ళలో పోసి, నాకు మజ్జిగ ఇస్తున్నారన్నమాట.

మిట్ట దగ్గర తాటాకు పాకలో నాగరత్నం అనే ముసలావిడ కాపలా ఉంది. నన్ను చూసి లేచి అడ్డం నిలబడింది.

"చెప్పుకోడానికైతే రండమ్మా. వినడానికైతే వద్దండి."

నేను ఆవిడని తోసుకుని వెళ్ళిపోయాను.

మిట్ట మనిషెత్తు ఉంది. తెల్లటి స్ఫటికాలు మొనలు మొనలుగా పొడుచుకొచ్చాయి. చుట్టూ ఎండిన బురద వాసన, కుళ్ళిన నాచు వాసన. అంత కొల్లేట్లో ఆ చుట్టుపక్కల ఒక్క పిట్ట అరుపు లేదు. చెయ్యి వేసి చూశాను. మిట్టమధ్యాహ్నం ఎండలో రాయి చల్లగా ఉంది. తడిగా కూడా ఉంది.

చెవి ఆనించాను.

ముందు ఈగలు ముసిరినట్టు రొద. తర్వాత మాటలు విడివడ్డాయి.

"గాలి లేచిందండీ..."

"పడవ ఒరిగిపోయింది..."

"తరుణ్‌బాబు పైకి తేలాడండీ. ఒడ్డుకి వచ్చేసేవాడే..."

ఏడుపు ముంచుకొచ్చింది. ఇన్నాళ్ళకి ఒకరు నోరు విప్పారు. "మరి మళ్ళీ ఎందుకు మునిగాడు?" అని రాయినే అడిగాను.

"పాప కోసమండీ..."

ఏ పాప? పడవలో పాప ఉందని నాకెవరూ చెప్పలేదు.

"రెండుసార్లు ఎత్తి చూపించాడు... ఆవిడ చెయ్యి చాపిందండీ... అందలేదు..."

"ఎవరావిడ?"

గొంతులు ఆగిపోయాయి. కాసేపటికి వేరే గొంతులు మొదలయ్యాయి. అవి కొల్లేటికోటవి కావు. మా గణపవరంలో మా వీధివాళ్ళవి. కుసుమది. మా ఆయన వినయ్‌ది. అందరూ ఏడుస్తున్నారు. చివరగా ఒక గొంతు...

నాది.

"దాని పేరు చెప్పేస్తున్నాను. తీసేసుకోండి. నాకొద్దు..."

పేరు కూడా విన్నాను. చెవి తియ్యగానే మర్చిపోయాను.

నాకు పిల్లల్లేరు.

ఎలా తిరిగొచ్చానో తెలీదు. బస్సులోంచి కుసుమకి ఫోన్ చేసి, తరుణ్ పోయాడు, చూసినవాళ్ళు చెప్పారు, కర్మ చేయించేద్దాం అన్నాను. చాలాసేపు ఏడ్చి, "ఇద్దరికీ చేయించాలా వదినగారూ?" అంది.

"ఇద్దరేంటి?"

"ఏమో వదినగారూ. నోట్లోంచి వచ్చేసింది."

ఇల్లు చేరేసరికి దీపాలు పెట్టే వేళయింది. ఆ మిట్టకి నువ్వెందుకెళ్ళావని వినయ్ మీద అరవాలని దారంతా మాటలు కూడగట్టుకున్నాను. ఆయన అన్నం తింటున్నాడు. ఆయన పక్కన నేలమీద చిన్న వెండి గిన్నె, అందులో పప్పన్నం, నెయ్యి.

"ఇది ఎవరికి?" అన్నాను.

ఆయన నా వైపు వింతగా చూశాడు. "రోజూ నువ్వే కదా కలిపి పెడతావు. ఇవాళ నువ్వు లేవని నేను పెట్టాను."

"ఎవరికి పెడతాను?"

ఆయన చెప్పబోయాడు. నోరు తెరిచి అలాగే ఉండిపోయాడు.

నేను వంగి గిన్నె చూశాను. సగం అన్నం తినేసి ఉంది. మిగిలిన దానిమీద చిన్న చిన్న వేళ్ళ గుర్తులు. అంచుకి పచ్చి నాచు అంటుకుని ఉంది.